పనసకర్ర దిమ్మలు: మూడో ఏటి నుంచి ఆరో తరగతి దాకా

పిల్లల కోసం మేము కొన్నవాటిలో ఇప్పటికీ రోజూ చేతుల్లో నలుగుతున్నవి, విజయనగరంలో మా వీధి చివరి వడ్రంగి చేసిచ్చిన పనసకర్ర దిమ్మలే. అమ్మాయికి మూడో ఏడు నడుస్తుండగా చేయించాం. ఇప్పుడు ఆమె ఆరో తరగతి, తమ్ముడు రెండో తరగతి. ఈ మధ్యకాలంలో పుట్టినరోజులకు వచ్చిన రిమోటు కారు, బ్యాటరీతో పాడే చిలుక, పెట్టె మీది బొమ్మ చూసి అచ్చంగా అదే తయారుచేయాల్సిన ప్లాస్టిక్ కోట ఒక్కొక్కటిగా అటక ఎక్కాయి. దిమ్మలు మాత్రం హాలు దాటలేదు. ఇవి అంత మంచివా, ఎవరైనా చేయించుకోవచ్చా అని అడిగేవారి కోసం, వాడి చూసిన సంగతులన్నీ రాస్తున్నాను.

కొలత ముందు చెప్పాలి, ఎందుకంటే వీటి బలమంతా అందులోనే ఉంది. మావి 4 అంగుళాల పొడవు, 2 అంగుళాల వెడల్పు, 1 అంగుళం మందం. దీన్ని ఒక దిమ్మ అనుకుంటే సగం దిమ్మ, రెట్టింపు దిమ్మ, నాలుగింతల పలక, కొన్ని ముక్కోణాలు, నాలుగైదు కమానులు. నిష్పత్తి 4:2:1. న్యూయార్కులో కారొలిన్ ప్రాట్ అనే ఉపాధ్యాయురాలు వందేళ్ళ కిందట వాడుకలోకి తెచ్చిన లెక్క ఇది. ఆమెకు స్వయంగా వడ్రంగం వచ్చు. 1914లో ఆమె పెట్టిన బడిలో పిల్లలు ఇలాంటి దిమ్మలతోనే తమ చుట్టూ ఉన్న ఊరిని కట్టేవారు. ఆమె కొలతలు మావాటికంటే పెద్దవి: ఐదున్నర, రెండుముప్పావు, ఒకటీ మూడెనిమిదోవంతు అంగుళాలు. మూడేళ్ళ చేతికి తేలికగా ఉండాలని మేము తగ్గించుకున్నాం. అంతకుముందే జర్మనీలో ఫ్రోబెల్ అనే విద్యావేత్త 1837లో చిన్నపిల్లల కోసం ప్రారంభించిన కేంద్రం నుంచి వచ్చిన ఆటవస్తువుల్లో ఎనిమిది ముక్కలుగా విడిపోయే చెక్క ఘనం ఉండేది. భవన శిల్పి ఫ్రాంక్ లాయిడ్ రైట్ చిన్నతనంలో తల్లి కొనిచ్చిన ఆ దిమ్మలను ముసలితనంలో కూడా తలుచుకున్నాడు.

ఇదంతా మా వడ్రంగికి చెప్పబోతే ఆయన మధ్యలోనే ఆపి, "ఇటుక లెక్కే కదమ్మా, వెడల్పుకు రెండింతలు పొడవు" అన్నాడు. అంతకంటే వివరం ఆయనకు అక్కరలేకపోయింది. రెండు సగాలు కలిస్తే ఒకటి, రెండు ఒకట్లు కలిస్తే రెట్టింపు. ముక్క తక్కువైనప్పుడు పిల్లలు వేరే ముక్కలతో ఆ ఖాళీని పూరిస్తారు. భిన్నాలు పాఠంగా రావడానికి చాలా ముందే మా అమ్మాయికి నాలుగు పావులు ఒకటని చేతికి తెలుసు.

కర్ర విషయంలో మా ప్రాంతానికి అదృష్టం ఉంది. బొబ్బిలి దగ్గర గొల్లపల్లిలో వీణలు చెక్కేది పనసమానుతోనే. ఏకాండి వీణకు ఒకే దుంగ కావాలి. పనసకర్ర బరువు మితంగా ఉంటుంది, చిత్రిక పడితే నున్నగా వస్తుంది, చెదలు తొందరగా పట్టవు. మా దిమ్మలు వచ్చిన కొత్తలో పసుపు ముద్దలా ఉండేవి, ఏళ్ళు గడిచేకొద్దీ ముదురు గోధుమ రంగుకు తిరిగాయి. ముక్కలు చాలక తరవాత మామిడికర్రతో కొన్ని చేయించి చూశాం. మరుసటి వానాకాలానికి వాటి కింద సన్నని పొడి రాలడం మొదలైంది, లోపల పురుగు చేరింది. చౌక అని మామిడికి వెళ్ళవద్దని నా మాట. ఏ కర్రయినా సరే, బాగా ఆరినదై ఉండాలి. పచ్చికర్ర ముక్కలు నెల తిరిగేసరికి వంకర పోతాయి, వంకర దిమ్మతో గోపురం నిలవదు.

రంగు వేయించలేదు, వార్నిషు కూడా వద్దన్నాను. నునుపు ఎక్కువైతే ఒకదాని మీద ఒకటి జారిపోతాయి. గరుకు కాగితంతో అంచులు గుండ్రంగా రుద్దించడం మాత్రం తప్పనిసరి. ఇంకొక జాగ్రత్త: మూడేళ్ళలోపు పిల్లలున్న ఇంట్లో అంగుళం ఘనాలు వద్దే వద్దు, నోట్లో పెట్టుకుంటే గొంతుకు అడ్డం పడతాయి. మా చిన్నవాడు నడక నేర్చే రోజుల్లో అన్నిటికంటే చిన్న ముక్క 2 అంగుళాల పలక ఉండేలా చూశాం, చిన్నవి తరవాత చేరాయి.

ఇక ఆట సంగతి. మొదటి కొన్ని నెలలు అమ్మాయి వీటితో ఏమీ కట్టలేదు. బుట్టలో వేసుకుని ఈ గది నుంచి ఆ గదికి మోసేది, కుమ్మరించేది, మళ్ళీ ఎత్తుకునేది. ఇంతేనా ఈ దిమ్మల గొప్ప అని ఇంటికొచ్చిన వాళ్ళు అనుకున్న దశ ఇదే, చాలా ఇళ్ళలో ఈ దశలోనే దిమ్మలు మూలపడతాయి. తరవాత వరసలు, తరవాత నిలువు కట్టడాలు. ఒకనాడు రెండు దిమ్మలు ఎడంగా నిలబెట్టి మూడోది అడ్డంగా పెట్టింది. ద్వారం తయారైంది. అది తెలిసిన రోజు అదే పని సాయంత్రం దాకా చేసింది. ఆ తరవాత చుట్టూ గోడలు కట్టి లోపల ఎవరో ఉన్నారని చెప్పడం మొదలైంది. పిల్లలను ఓపికగా గమనించినవాళ్ళు ఈ క్రమాన్నే రాశారు: మోయడం, పేర్చడం, వంతెన, ఆవరణ, అలంకారం, చివరికి పేరు పెట్టి నిజమైన ఊరిని కట్టడం. ఒక మెట్టు మీద ఉన్న పిల్లను పై మెట్టుకు లాగనవసరం లేదు.

పెద్దల మాటలు ఇక్కడ ఎంత పని చేస్తాయో, ఎంత చెరుపుతాయో దగ్గరుండి చూశాను. మా అత్తగారు ఒకసారి, "ఇదేమిటే తల్లీ, ఇల్లా?" అని అడిగారు. "కాదు మామ్మా, చంపావతి. మీద వంతెన, కింద నీళ్ళు లేవు" అంది పిల్ల. నిజమే, నెల్లిమర్ల వైపు వెళ్ళినప్పుడు వేసవిలో ఆ నది అలాగే కనబడుతుంది. అప్పటి నుంచి మా ఇంట్లో ఎవరూ అది ఇల్లని, రైలని ముందే పేరు పెట్టరు. "దీని కథ చెప్పు" అంటాం, చెప్పకపోతే ఊరుకుంటాం. బాగుంది అని పొగడడం కూడా తగ్గించాను. పొగిడిన కట్టడాన్నే పిల్లలు మళ్ళీ మళ్ళీ కడతారు, కొత్తది వెతకరు.

ఈ దిమ్మలు ఎంత దూరం తీసుకెళ్ళగలవో నాకు తెలిసింది పైడితల్లి అమ్మవారి జాతర రోజుల్లో. దసరా తరవాతి మంగళవారం సిరిమాను చూసి వచ్చిన పిల్లలకు ఆ రాత్రి నిద్ర పట్టలేదు. పెద్ద చింతమాను చివర పూజారి కూర్చుని కోటకూ గుడికీ మధ్య మూడుసార్లు ఊరేగడం ఏ పిల్లను ఊరుకోనిస్తుంది? మర్నాడు పొద్దున్నే హాలులో గుడి దగ్గరి మూడు లాంతర్ల కూడలి వెలిసింది, కమానులతో కోట గుమ్మం లేచింది, చింతగింజలు జనమయ్యాయి. సిరిమాను దగ్గర పని ఆగింది. నాలుగింతల పలక చివర చిన్న దిమ్మ పెడితే పలక ముందుకు పడిపోతోంది. ఆసరాను అటు జరిపారు, ఇటు జరిపారు. చిన్నవాడు పూజారిని దింపేసి ఖాళీ మానునే ఊరేగిద్దామన్నాడు. అక్క ఒప్పుకోలేదు, ఏడ్చింది, అన్నం తిని మళ్ళీ వచ్చి కూర్చుంది. నేను వంటింట్లోంచి చూస్తూ నోరు కట్టుకున్నాను. సాయంత్రానికి పలక వెనక కొసన రెండు దిమ్మలు బరువు పెట్టింది, పూజారి గాలిలో నిలిచాడు. మరుసటి ఏడు దారపు రీళ్ళు చక్రాలుగా చేరాయి, ఊరేగింపులో సిరిమానుకు ముందు నడిచే తెల్ల ఏనుగుకు మామ్మ పాత చీర ముక్క కప్పు అయింది, అందులోనే కనబడే బెస్తవారి వలకు ఉల్లిపాయల సంచి దొరికింది. బొమ్మ సిరిమాను బజారులో కొనిచ్చి ఉంటే ఒక పూట ఆడేవారు. ఇది వాళ్ళకు ప్రతి దసరాకూ కొత్త పనిగా వస్తోంది.

ఊరకే దొరికే వస్తువులు పక్కన ఉన్నప్పుడే దిమ్మలు పూర్తిగా పలుకుతాయి. కొబ్బరి చిప్పలు, తాటి బుర్రలు, గుడ్డ పీలికలు, అగ్గిపెట్టెలు ఒక బుట్టలో ఉంచాం. ఏటికొప్పాక లక్క బొమ్మలు కొన్ని ఉన్నాయి, అంకుడుకర్రవి. అవి ఈ ఊళ్ళో కాపురం ఉంటాయి. తుఫాను రోజుల్లో కరెంటు పోయినప్పుడు టార్చి వెలుగులో దిమ్మల నీడలు గోడ మీద పడితే పిల్లలు నీడలతోనే ఇంకొక ఊరు కట్టారు. టార్చి దగ్గరకు జరిపితే భవనం పెరుగుతుందని వాళ్ళే కనిపెట్టారు.

అయితే కర్ర ఒక్కటే సరిపోదు. కట్టింది రాత్రికి తీసేయాలంటే పిల్లలు చిన్నవే కడతారు. మా హాలులో కిటికీ కింద ముగ్గుపిండితో ఒక గీత గీశాం. గీత లోపలికి చీపురు రాదు, తడిగుడ్డ రాదు, చుట్టాల చెప్పులు అసలే రావు. అనుమతి పిల్లల నుంచి తీసుకోవాలి. ఒక కట్టడం వారం ఉంటుంది, ఒక్కోసారి అంతకంటే ఎక్కువ. చిన్న ఇల్లయితే మంచం కింద ఒక ప్లైవుడ్ పలక వేసి, ఆట కాగానే పలకతో సహా లోపలికి తోయవచ్చు. మా చెల్లెలు శ్రీకాకుళంలో రెండు గదుల అద్దె ఇంట్లో అలాగే నడుపుకొస్తోంది.

కష్టాలూ చెప్పాలి. చప్పుడు చాలా ఎక్కువ. టైల్సు నేల మీద గోపురం కూలితే కింది వాటా వాళ్ళు పైకి వస్తారు, ఒక టైలు మూల పగిలింది కూడా. చాప గానీ పాత జంపఖానా గానీ పరిస్తే సగం తగ్గుతుంది, కానీ మెత్తటి నేల మీద కట్టడం ఊగుతుంది. మేము జంపఖానా మీద ప్లైవుడ్ వేశాం. బరువు ఎక్కువ, ప్రయాణాలకు పనికిరావు. రైల్లో అయితే ఒకదానిలో ఒకటి గుచ్చుకునే ప్లాస్టిక్ ముక్కలే మేలు. అయితే అవి అతుక్కుంటాయి కాబట్టి బరువు, నిలకడ సంగతి చేతికి తెలియదు. వానాకాలంలో దిమ్మలు అడ్డంగా కొద్దిగా ఉబ్బుతాయి, మూసిన పెట్టెలో ఉంటే బూజు వాసన పట్టుకుంటుంది. వెదురు బుట్టలో ఉంచి, ముసురు వెలిశాక వరండాలో నీడన ఆరబెడితే చాలు. ఎర్రటి ఎండలో పెడితే పగుళ్ళు వస్తాయి.

ఫోనుతో పోటీ పడి ఇవి గెలవవు. ఫోను అదే గదిలో వెలుగుతుంటే దిమ్మలు కనబడవు, కాబట్టి ఫోను గదిలో లేని వేళలే వీటి వేళలు. పిల్లలందరికీ ఇవి ఒకేలా నచ్చుతాయని కూడా చెప్పను. మా అమ్మాయికి కట్టడమే ఆట. చిన్నవాడికి కట్టడం కంటే కథ ముఖ్యం, రెండు దిమ్మలు చేతికి దొరికితే అవే పులి, అవే వేటగాడు. వాడి చేతిలో దిమ్మ నిలబడడం కంటే మాట్లాడడం ఎక్కువ. రెండూ ఆటే కాబట్టి ఏదో ఒకటి నేర్పాలని కూర్చోలేదు.

కొత్తగా చేయించుకునేవారు అరవై దిమ్మలతో మొదలుపెట్టండి. వాటిలో సగం మామూలు దిమ్మలు, పావు వంతు రెట్టింపువి, మిగిలినవి సగాలు, పలకలు. ఒక బిడ్డకు అది చాలు, ఇద్దరు కలిసి ఆడాలంటే వంద దాటాలి, లేకపోతే పంపకాల దగ్గరే పూట గడుస్తుంది. ముక్కోణాలు, కమానులు ఏడాది తరవాత చేర్చుకోవచ్చు. ధరలో కర్రకంటే కూలే ఎక్కువ పడుతుంది. వీణలకూ గుమ్మాలకూ వాడగా మిగిలిన తునకలు అడిగితే కర్ర ఖర్చు బాగా తగ్గుతుంది. నాలుగు దిమ్మలు పక్కపక్కన పేర్చి, పైన ఇంకొకటి పెట్టి ఊగుతోందేమో అక్కడే చూసుకుని తీసుకోండి. ఊగినది వెంటనే చిత్రిక పట్టించండి. పెళ్ళిళ్ళ కాలంలో వడ్రంగులు మంచాలు, బీరువాల పనిలో ఉంటారు, ఇలాంటి చిన్న పని వెనక్కి పోతుంది. ఆషాఢంలో చెబితే దసరా సెలవుల నాటికి చేతికి వస్తాయి.