గట్టి వేషాల నటుడికి ఏది మేలు: హీరో కావడమా, పక్క పాత్రల్లోనే పాతుకుపోవడమా?

రౌడీ, ఫ్యాక్షనిస్టు, మొరటు అన్న, కర్కశమైన పోలీసు. ఇలాంటి గట్టి వేషాలతో పేరు తెచ్చుకున్న తెలుగు నటుడి దగ్గరికి ఏదో ఒక రోజు ఒక నిర్మాత వస్తాడు. "అన్నా, మాస్‌లో నీకు మంచి ఫాలోయింగుంది. నిన్ను హీరోగా పెట్టి తీద్దాం" అంటాడు. ఒప్పుకోవాలా, వద్దా? ఒప్పుకుని గెలిచినవాళ్ళున్నారు, ఒప్పుకుని తిరిగొచ్చినవాళ్ళున్నారు. మొదటే హీరోగా దెబ్బతిని, ఆ దెబ్బతోనే యాభై ఏళ్ళు బతికినవాళ్ళూ ఉన్నారు.

ముందు శ్రీహరి సంగతి చూద్దాం. ఈ ప్రశ్నకి రెండు వైపులా ఆయన జీవితంలోనే కనిపిస్తాయి. బాడీ బిల్డింగ్, జిమ్నాస్టిక్స్ నుంచి వచ్చిన మనిషి. మొదట్లో ఫైట్లలో ఒకడు, ఆ తర్వాత విలన్ పక్కన ఉండే అనుచరుడు, ఆ తర్వాత విలన్. 1999లో 'పోలీస్'తో హీరో అయ్యారు. 2000లో 'అయోధ్య రామయ్య', 2001లో 'భద్రాచలం' వచ్చాయి. బి, సి సెంటర్లలో, అంటే చిన్న పట్నాలు, పల్లెల థియేటర్లలో, ఆయనకంటూ ఒక మార్కెట్ ఏర్పడింది. 'భద్రాచలం'లోని స్ఫూర్తి పాటనైతే ఇప్పటికీ ఆటల పోటీల దగ్గర మైకుల్లో వేస్తూనే ఉంటారు.

కానీ హీరో అనిపించుకోవడంలో ఒక చిక్కుంది. శుక్రవారం పొద్దున ఆటకి జనం రాకపోతే ఆ లెక్క హీరో ఖాతాలోకే వెళ్తుంది. అదే సినిమాలో విలన్‌కి ఆ బెంగ లేదు. సినిమా పోయినా "వాడు మాత్రం బాగా చేశాడ్రా" అనుకుంటూ బయటికొస్తారు జనం. హీరోకి వరసగా నాలుగు సినిమాలు ఆడకపోతే అయిదోది ఉండదు. విలన్‌కి అదే ఏడాది మరో అరడజను సినిమాలు నడుస్తూ ఉంటాయి. పైగా ఒక్క ఒంటి బలం మీద నిలబడిన హీరోకి కథలు తొందరగా అయిపోతాయి. నిజాయితీపరుడైన పోలీసు, పేదల పక్షాన నిలిచే పెద్దన్న, అన్యాయానికి ఎదురుతిరిగే మామూలు మనిషి... ఆ తర్వాత మళ్ళీ పోలీసే.

ఇక్కడే శ్రీహరి తెలివైన పని చేశారు. 2005లో ప్రభుదేవా డైరెక్ట్ చేసిన 'నువ్వొస్తానంటే నేనొద్దంటానా'లో హీరోయిన్ అన్నయ్యగా, శివరామకృష్ణగా వచ్చారు. హీరోగా పోస్టర్ల మీద ఉన్న మనిషి ఒక కుర్ర హీరో సినిమాలో అన్నయ్య వేషానికి ఒప్పుకోవడం పరిశ్రమ లెక్కల్లో దిగిపోవడమే. కానీ ఆ సినిమాలో ఏం జరుగుతుందో చూడండి. విదేశాల్లో పెరిగిన కుర్రాడు పిల్లనిమ్మని వస్తాడు. ఆ అన్నయ్య చెయ్యెత్తడు. పొలంలో దిగి నాకంటే ఎక్కువ పంట పండించి చూపించు అంటాడు. అంత భారీ మనిషి పంచె కట్టుకుని గట్టు మీద నిలబడి చూస్తుంటే, కొడతాడేమోనన్న భయం ప్రతి సీన్లోనూ ఉంటుంది. ఆ దెబ్బ పడకుండా ఆపుకోవడంలోనే నటనంతా ఉంది. చెల్లెలి వైపు తిరిగినప్పుడు అదే ముఖం ఎలా మెత్తబడుతుందో గమనిస్తే, హీరోగా ఉన్న రోజుల్లో ఈ పని చేసే అవకాశమే ఆయనకి రాలేదని తెలిసిపోతుంది.

ఆ తర్వాత 'ఢీ', 'కింగ్', 2009లో 'మగధీర'లో షేర్ ఖాన్. ఇవన్నీ హీరో తర్వాతి రెండో వేషాలుగా చేసినవే, అన్నిట్లోనూ నిలిచిపోయారు. 2013 అక్టోబరులో 49 ఏళ్ళకే పోవడంతో ఆ రెండో ఇన్నింగ్స్ మధ్యలోనే ఆగింది.

హీరో కావడం దండగ అని దీన్నిబట్టి తేల్చేయొచ్చా? నేను తేల్చను. 1999కి ముందు శ్రీహరిని ఆ అన్నయ్యగా ఎవరూ ఊహించి ఉండరు. అనుచరుడి వేషాలేసే మనిషి ఎదురు నిలిస్తే, హీరో రెండు గుద్దులతో పడేస్తాడని ప్రేక్షకుడికి ముందే తెలుసు. అయిదారేళ్ళు హీరోగా గెలవడం చూసిన మనిషి ఎదురు నిలిస్తే ఫలితం తెలియదు. అన్నయ్య పాత్రకి ఆ బరువు హీరో సినిమాల నుంచే వచ్చింది. కాబట్టి ఎక్కడం తప్పు కాదు. సమయానికి దిగడం చేతకావాలి, అంతే.

దిగకుండా పైనే నిలబడ్డవాళ్ళలో మోహన్‌బాబు పేరే ముందు చెప్పాలి. వ్యాయామ ఉపాధ్యాయుడిగా పనిచేసి, 1975లో దాసరి 'స్వర్గం నరకం'తో వచ్చి, విలన్‌గా స్థిరపడి, 'అల్లుడుగారు', 1991లో 'అసెంబ్లీ రౌడీ', 1995లో 'పెదరాయుడు' దాకా వెళ్ళారు. డైలాగ్ చెప్పడంలో ఆయన పట్టు గురించి కొత్తగా చెప్పేదేముంది. కానీ అసలు కీలకం శ్రీ లక్ష్మీ ప్రసన్న పిక్చర్స్. సొంత బ్యానర్ ఉన్న విలన్, ఇంకొకళ్ళు హీరోని చేస్తారేమోనని ఎదురుచూడక్కర్లేదు. సొంత బావి ఉన్న రైతు కాలవ నీళ్ళ వంతు కోసం కూర్చోడు కదా. రెండు సినిమాలు పోయినా మూడోది తనే తీసుకుంటాడు. ఆ వెసులుబాటు లేని నటుడు మోహన్‌బాబు దారిని చూసి ఉత్సాహపడితే నష్టపోవడం ఖాయం.

గోపీచంద్‌ది వేరే లెక్క. 2001లో 'తొలివలపు'తో హీరోగా వచ్చాడు, ఆడలేదు. 'జయం', 'నిజం', 'వర్షం' మూడింట్లో విలన్‌గా భయపెట్టి, 2004లోనే 'యజ్ఞం'తో మళ్ళీ హీరో అయిపోయాడు. విలన్ ముద్ర ముఖానికి అంటుకునేలోపే బయటపడ్డాడన్నమాట. వయసు, ఎత్తు, సమయం అన్నీ కలిసొచ్చాయి. నలభై దాటిన నటుడికి ఆ దారి లేదు.

ఇప్పుడు రెండో వైపు. కైకాల సత్యనారాయణ 1959లో 'సిపాయి కూతురు'లో హీరోగానే మొదలయ్యారు. సినిమా పోయింది. ఎన్టీఆర్ పోలికలుండటంతో ఆయనకి డూప్‌గా కూడా చేశారు. హీరో వేషాలు రాని ఆ రోజుల్లో విఠలాచార్య విలన్‌గా పెట్టారు. ఎన్టీఆర్‌లా ఉన్న మనిషి ఎన్టీఆర్ ఉన్న కాలంలో హీరోగా ఎంతకాలం నిలబడేవాడు? ఆ ఫ్లాపే ఆయన్ని కాపాడిందని నా నమ్మకం.

విలన్‌గా కుదురుకున్నాక ఆయన అక్కడే ఆగిపోలేదు. 1973లో విశ్వనాథ్ 'శారద'లో మెత్తటి అన్నయ్యగా చూపించారు. అప్పటిదాకా ఆడవాళ్ళ చెయ్యి పట్టి లాగే వేషాలేసిన మనిషిని చూసి జనం ఏడ్చారు. పౌరాణికాల్లో దుర్యోధనుడు, ఘటోత్కచుడు, సాంఘికాల్లో తండ్రి, తాత. 1977 'యమగోల'లో యముడు, మళ్ళీ 1994 'యమలీల'లోనూ యముడు. మధ్యలో పదిహేడేళ్ళు. రెండోసారి ఆ యముడు భూలోకానికి దిగి, కిరీటం, గద, ఒంటినిండా నగలతో హిమక్రీముల రుచి మరిగి లొట్టలేస్తుంటాడు. ఆ నవ్వు ఎక్కడిదంటే, ముప్పై ఏళ్ళుగా మనల్ని భయపెట్టిన ఆ గొంతు, ఆ ఆకారమే చిన్నపిల్లాడిలా ఐస్‌క్రీమ్ కోసం ఆత్రపడటంలో ఉంది. ఏ కమెడియన్ చేసినా అందులో సగం నవ్వు కూడా రాదు. గట్టి వేషాలు వేసినన్నాళ్ళూ కూడబెట్టుకున్న భయాన్ని ఆయన ఇలా ఖర్చుపెట్టారు.

కోట శ్రీనివాసరావు ఇంకో అడుగు ముందుకెళ్ళారు. బ్యాంకు ఉద్యోగి, నాటకాల మనిషి. 1978లో 'ప్రాణం ఖరీదు'తో తెరకొచ్చినా, అసలు గుర్తింపు 1985లో 'ప్రతిఘటన'తో. తెలంగాణ యాసలో మాట్లాడే ఆ రాజకీయ నాయకుణ్ణి చూసి అసహ్యించుకోనివాళ్ళు లేరు. (ఆ సినిమా దర్శకుడు టి. కృష్ణ కొడుకే ఇందాక చెప్పుకున్న గోపీచంద్.) రెండేళ్ళకి జంధ్యాల 'అహ నా పెళ్లంట'లో పిసినారి లక్ష్మీపతిని చేశారు. ఆ వేషానికి నిర్మాత రామానాయుడు రావు గోపాలరావుని అనుకుంటే, జంధ్యాల కోటే కావాలని పట్టుబట్టారట. బతికున్న కోడిని ఎదురుగా వేలాడదీసుకుని, దాన్ని చూస్తూ ఉత్త అన్నం తినే దృశ్యం మీకు గుర్తుండే ఉంటుంది. అందులో ఒక్క వెకిలి చేష్ట కూడా ఉండదు. కోడి వంక చూసే ఆ చూపులో ఎంత శ్రద్ధంటే, విలన్ హీరోయిన్ని చూసేటప్పుడు కూడా అంత ఉండదు.

అక్కణ్ణుంచి కోటకి తలుపులన్నీ తెరుచుకున్నాయి. ఒకే ఏడాది ఒక సినిమాలో రక్తం కళ్ళజూసే విలన్, ఇంకోదాంట్లో బాబూమోహన్‌తో కలిసి కామెడీ, మరోదాంట్లో కన్నీళ్ళు పెట్టించే తండ్రి. తమిళంలో 'సామి', హిందీలో 'సర్కార్'. 2015లో పద్మశ్రీ. ఆయన హీరోగా నిలబడాలని ప్రయత్నం చేయలేదు, చేయాల్సిన అవసరమూ రాలేదు. సహాయ నటుడికి పారితోషికం చాలావరకు రోజుల లెక్కన. హీరోకి ఒక సినిమాకొచ్చే మొత్తం పెద్దదే గానీ, ఏడాది పొడవునా కాల్షీట్లు (షూటింగుకిచ్చే రోజులు) నిండి ఉన్న నటుడి రాబడి నిలకడగా ఉంటుంది. ఆ నిలకడ మధ్యవయసు దాటాక ఇంకా బాగా తెలుస్తుంది. తండ్రి వేషాలు, తాత వేషాలు వెతుక్కుంటూ వచ్చేది ఇలాంటివాళ్ళ దగ్గరికే.

జయప్రకాశ్ రెడ్డిది మూడో తరహా. లెక్కల మాస్టారు. 1997లో 'ప్రేమించుకుందాం రా', 1999లో 'సమరసింహా రెడ్డి' తర్వాత రాయలసీమ యాస అంటే ఆయనే. ఆ మూసని ఆయన వదల్లేదు. అదే యాసని, అదే గుడ్లురుముడుని పట్టుకెళ్ళి కామెడీలో పెట్టారు. వేషం మారలేదు, చుట్టూ సినిమా మారింది. ఇదీ ఒక దారే, కాకపోతే యాస అంత ఒంటబట్టినవాళ్ళకే.

మరి ఏది మేలంటే, నా ఓటు సత్యనారాయణ, కోటల వైపే. ఒక్క షరతు మీద: నవ్వించడం గానీ, ఏడిపించడం గానీ, రెండిట్లో ఒకటైనా వచ్చి ఉండాలి. ఒక్క ఒంటి బలం మాత్రమే ఉన్న నటుడికైతే శ్రీహరి దారే మంచిది. హీరోగా కొన్నేళ్ళు చేసి, మార్కెట్ పూర్తిగా పడిపోకముందే తనకిష్టమైన రెండో వేషాన్ని ఎంచుకుని రావాలి. పడిపోయాక వస్తే ఎంచుకునేందుకు ఏమీ మిగలదు. జగపతిబాబు 2014లో 'లెజెండ్'తో విలన్‌గా మారినప్పుడు ఆయన హీరో మార్కెట్ బాగా తగ్గి ఉన్నా, తండ్రి వేషాలకి సర్దుకోకుండా నేరుగా ప్రధాన విలన్‌గా దిగడం వల్లే అది ఆయనకి కొత్త ఆరంభమైంది.

ఇప్పటివాళ్ళకి ఇంకో ఇబ్బంది ఉంది. గట్టి వేషాలు చాలావరకు ముంబై, చెన్నై, కేరళ నుంచి వచ్చిన నటులకి వెళ్తున్నాయి, గొంతు ఇంకొకరిది పెడుతున్నారు. బయటి భాషల విలన్లని తెచ్చుకోవడం గురించి కోట బతికున్నన్నాళ్ళూ బాహాటంగానే విసుక్కున్నారు. అజయ్‌ని చూడండి. 'విక్రమార్కుడు'లో టిట్లాగా ఒళ్ళు జలదరింపజేశాడు. 2009లో 'సారాయి వీర్రాజు'తో హీరోగా ప్రయత్నించాడు, కుదరలేదు. మళ్ళీ పక్క పాత్రలకి వచ్చి, 'ఇష్క్'లో హీరోయిన్ అన్నయ్యగా హీరోతో సమానంగా నిలబడ్డాడు. ఆ స్థాయి వేషాలు ఆయనకి ఏడాదికి రెండు పడాల్సింది, పడలేదు. అందులో ఆయన తప్పేం లేదు. అలాంటి పాత్ర రాసినప్పుడు తెలుగు మాట్లాడే ముఖం కోసం ముందు ఇక్కడే వెతికే దర్శకులు తగ్గిపోయారు.