యాక్సిడెంట్ డబ్బుల ఎఫ్‌డీ ముందే తీయడానికి ఈ బ్యాంకుకి వెళ్తే మాకు ఎదురైంది ఇదీ

మా నాన్న లారీ యాక్సిడెంట్‌లో పోయాక వచ్చిన పరిహారంలో అమ్మ వాటా 3 ఏళ్లకి ఎఫ్‌డీ వేయమంది ట్రిబ్యునల్ (యాక్సిడెంట్ పరిహారం కేసులు చూసే కోర్టు), బాండ్ మీద ఎర్ర సిరాతో "కోర్టు ఆర్డర్ లేనిదే తీయరాదు, లోన్ ఇవ్వరాదు" అని స్టాంపు కూడా ఉంది. తమ్ముడి ఇంజినీరింగ్ ఫీజు కోసం వెళ్తే కౌంటర్‌లో కుదరదన్నారు, సరే అది రూలు, దానికి నేనేం అనను, కానీ కోర్టులో పిటిషన్ వేసుకోవచ్చమ్మా అని ఒక్క ముక్క చెప్పలేదండి, అమ్మ ఆ బాండ్ కొంగులో చుట్టుకుని ఏడుస్తూ వచ్చేసింది.

మా లాయర్ గారే చెప్పారు, మనిషి చదువు, అవసరం చూడకుండా అందరి డబ్బూ ఒకేలా ఎఫ్‌డీల్లో పెట్టేయొద్దని 2012లోనే ఏవీ పద్మ కేసులో సుప్రీంకోర్టు ట్రిబ్యునళ్లకి చెప్పిందని. కాలేజీ ఫీజు లెటర్, బాండ్ జిరాక్స్, అమ్మ అఫిడవిట్ పెట్టి పిటిషన్ వేశాం, పర్మిషన్ వచ్చింది. ఆర్డర్ పట్టుకెళ్తే మళ్లీ పై ఆఫీసుకి పంపాలంటూ 11 రోజులు తిప్పారు, గడువుకి ముందు తీస్తే వడ్డీ తగ్గుతుందన్నదీ చివర్లోనే చెప్పారు.

లాయర్ గారికి 5 స్టార్లు, ఈ బ్రాంచ్‌కి 1. వెళ్లేవాళ్లు కోర్టు ఆర్డర్ సర్టిఫైడ్ కాపీ (కోర్టే ముద్ర వేసి ఇచ్చే నకలు) ఇచ్చి, అందినట్టు సీలు, తేదీ తప్పకుండా వేయించుకోండి.