ప్రాజెక్టు మేనేజర్‌ను చేస్తామని ఫీజు కట్టించుకునేవారితో జాగ్రత్త

ప్రాజెక్టు కోఆర్డినేటర్‌గా పనిచేస్తూ, పీఎంపీ (ప్రాజెక్ట్ మేనేజ్‌మెంట్ ప్రొఫెషనల్) సర్టిఫికెట్ సంపాదించి ప్రాజెక్టు మేనేజర్ కావాలనుకుంటున్నవారు ఎక్కడైనా డబ్బు కట్టే ముందు ఇది చదవండి. హైదరాబాద్ అమీర్‌పేటలోని ఒక శిక్షణ సంస్థలో 62,000 రూపాయలు, ఆపైన 18 శాతం జీఎస్టీ కట్టి చేరాను. ఫిర్యాదు నడుస్తోంది కాబట్టి పేరు రాయడం లేదు. రాసినా పెద్దగా ఉపయోగం ఉండదు, బోర్డు మార్చి ఇదే తంతు నడిపేవాళ్లు ఇంకా ఉన్నారు. డబ్బు సంగతి అలా ఉంచండి. నా పేరుతో, నాకు తెలియని అబద్ధాలు రాసి, వాటి కింద నా చేత సంతకం పెట్టించబోయారు. అసలు హెచ్చరిక దాని గురించే.

పీఎంపీ ఇచ్చేది అమెరికాలోని ప్రాజెక్ట్ మేనేజ్‌మెంట్ ఇన్‌స్టిట్యూట్, అంటే పీఎంఐ. డిగ్రీ చదివినవారు ఈ పరీక్ష రాయాలంటే ప్రాజెక్టులను ముందుండి నడిపించిన అనుభవం 36 నెలలు, శిక్షణ 35 గంటలు చూపించాలి. కోఆర్డినేటర్లందరికీ గుండె జారేది ఈ 36 నెలల దగ్గరే. మన హోదాలో మేనేజర్ అనే మాటే లేదు కదా, మన అనుభవం చెల్లుతుందా అన్న సందేహం. సంస్థలోని కౌన్సెలర్ సరిగ్గా అక్కడే పట్టుకుంటాడు. "అనుభవం సంగతి మాకు వదిలేయండి మేడమ్, అప్లికేషన్ మా వాళ్లే నింపేస్తారు" అన్నాడు. నింపడమంటే భాష దిద్దిపెట్టడమని ఎవరైనా అనుకుంటారు.

నేను ఆసుపత్రుల్లో స్కానింగ్ యంత్రాలు అమర్చే కంపెనీలో పనిచేస్తాను. వాళ్లు పంపిన ముసాయిదాలో నేను ఒక బ్యాంకు కంప్యూటర్ వ్యవస్థను పాతదాని నుంచి కొత్తదానికి మార్చే ప్రాజెక్టును నడిపించినట్టు ఉంది. బ్యాంకుతో నాకున్న సంబంధం నెలనెలా జీతం పడే ఖాతా ఒక్కటే. ప్రాజెక్టు 2019లో మొదలైందట. అప్పటికి నేను ఇంజినీరింగ్ చివరి ఏడాదిలో ఉన్నాను. మొదటి పేరాలో నేను మగవాడిని, మూడో పేరాకు వచ్చేసరికి స్త్రీనయ్యాను. ఫైలు పేరులో ఇంకెవరిదో ఇంటిపేరు అలాగే మిగిలిపోయింది. ఆ ఇంటిపేరు గలవారు ఇదే కథతో పరీక్ష రాసేశారో, ఎక్కడైనా దొరికిపోయారో నాకు తెలియదు.

ఇదేమిటని అడిగితే, అందరికీ ఇలాగే పంపుతామని, ఆడిట్ వచ్చేది ఎవరో ఒకరిద్దరికేనని, వచ్చినా సంతకం పెట్టడానికి తమ దగ్గర మనుషులున్నారని చెప్పారు. ఏ మాత్రం తడబాటు లేదు.

ఆడిట్ అంటే ఏమిటో వాళ్లు చెప్పరు కాబట్టి నేను చెబుతాను. పీఎంఐ కొన్ని దరఖాస్తులను తనిఖీకి ఎంచుకుంటుంది. మన దరఖాస్తు వాటిలో ఉంటే డిగ్రీ పత్రం, శిక్షణ ధ్రువపత్రం, మనం రాసిన ప్రతి ప్రాజెక్టుకూ ఆ ప్రాజెక్టు తెలిసిన పై అధికారి సంతకం 90 రోజుల్లో పంపాలి. పంపలేకపోతే ఏడాది పాటు మళ్లీ దరఖాస్తు చేసుకోనివ్వరు. తప్పుడు వివరాలని తేలితే ఆ తలుపు శాశ్వతంగా మూసుకుపోవచ్చు, చేతికొచ్చిన సర్టిఫికెట్ కూడా రద్దు కావచ్చు. అప్పుడు పోయేది మీ పేరు. దరఖాస్తులో శిక్షణ వివరాల దగ్గర తప్ప సంస్థ పేరు ఉండదు, ఆ కథ రాసింది వాళ్లేనని ఎక్కడా కనిపించదు, కాబట్టి వాళ్లకు పోయేదేమీ లేదు.

విడ్డూరం ఏమిటంటే, నాకు ఆ కట్టుకథ అవసరమే లేదు. మా మేనేజర్ గారితో కూర్చుని చేసిన పనులన్నీ లెక్క తీస్తే, నిజంగా ఉన్న నెలలే దండిగా తేలాయి. పీఎంఐ అడిగేది హోదా కాదు, చేసిన పని. ఒక జిల్లా ఆసుపత్రిలో సీటీ స్కాన్ యంత్రం పెట్టాలంటే గది సిద్ధం కావాలి, దానికి రేడియేషన్ భద్రత చూసే అణుశక్తి నియంత్రణ మండలి (ఏఈఆర్‌బీ) అనుమతి రావాలి, కరెంటు పనులు పూర్తవ్వాలి, ఆ తర్వాతే లారీ బయలుదేరాలి. ఇందులో ఏది ముందు, ఏది వెనుక అని నిర్ణయించింది నేనే. గోడ పని ఆలస్యమైనప్పుడు ఆసుపత్రి సూపరింటెండెంట్‌కు కొత్త తేదీ చెప్పి ఒప్పించిందీ నేనే. అది నడిపించడం కిందికే వస్తుంది. సమావేశంలో మాట్లాడినవి రాసుకుని మెయిల్ పంపడం, పట్టికలో తేదీలు మార్చడం, వెండర్లకు గుర్తుచేయడం మాత్రమే చేసిన నెలలు దాని కిందికి రావు. వాటిని పక్కన పెట్టేశాను. కోఆర్డినేటర్ మిత్రులు ఈ తేడా గమనించి తమ పనిని తామే రాసుకోవాలి. డబ్బిచ్చి ఎవరి చేతా రాయించవద్దు.

36 నెలలు నిండనివారికి అదే పీఎంఐ ఇచ్చే సీఏపీఎం అనే తొలి మెట్టు సర్టిఫికెట్ ఉంది. దానికి అనుభవం అక్కర్లేదు, 23 గంటల శిక్షణ చాలు. ఈ మాట కౌన్సెలర్ నోట ఒక్కసారి కూడా రాలేదు. దాని మీద ఫీజు తక్కువ మరి.

ఇక పాఠాలు. పీఎంఐ ప్రచురించే పీఎంబోక్ గైడ్ అనే పుస్తకం పాత ఆరో ముద్రణలోని 49 ప్రాసెస్‌లను, ప్రతిదానికీ ఏవి లోపలికి వెళతాయి, ఏవి బయటికి వస్తాయి అని ఎక్కాల్లా వల్లె వేయించారు. 2017 నాటి పుస్తకం అది. 2021లో ఏడో ముద్రణ వచ్చి, ఆ పట్టిక స్థానంలో 12 సూత్రాలు పెట్టింది. అదే ఏడాది జనవరిలో పరీక్ష కూడా మారి, దాదాపు సగం ప్రశ్నలు అజైల్ (పనిని చిన్న చిన్న విడతలుగా, మార్పులు చేసుకుంటూ నడపడం), హైబ్రిడ్ (దాన్ని పాత పద్ధతితో కలపడం) పద్ధతుల మీద రావడం మొదలైంది. అజైల్ గురించి అడిగితే, చివరి వారాంతంలో చెబుతామన్నారు. ఆ వారాంతం రానేలేదు. దానికి బదులు వాట్సాప్‌లో "అసలు పరీక్ష ప్రశ్నలు" అంటూ ఒక ఫైలు వచ్చింది. పరీక్షలోని ప్రశ్నలు బయట పెట్టబోమని రాసేవాళ్లందరూ ఒప్పుకుంటారు. కాబట్టి ఆ ఫైలు దొంగసొత్తయినా కావాలి, దొంగ ఫైలైనా కావాలి.

గోడల మీద ఫొటోలు చూసి మోసపోకండి. నేను చేరినచోట "పీఎంపీలో 96 శాతం" అని దండ వేసినట్టు ముద్రించిన ముఖాలు వరుసగా ఉంటాయి. పీఎంపీ ఫలితంలో మార్కులు, శాతాలు ఉండవు. పాసా, ఫెయిలా అన్నదానితో పాటు ఒక్కో విభాగంలో మీ స్థాయి మాత్రం చెబుతారు. శాతం రాసిన పోస్టరు అబద్ధమని నిలబడ్డచోటే తేల్చవచ్చు. వాటి పక్కనే "రిజిస్టర్డ్ ఎడ్యుకేషన్ ప్రొవైడర్" అన్న ముద్ర కూడా ఉంది. ఆ పథకాన్ని పీఎంఐ ఎత్తేసి 2020లో "ఆథరైజ్డ్ ట్రైనింగ్ పార్ట్‌నర్" అన్న కొత్త ఏర్పాటు తెచ్చింది. ఆ జాబితా పీఎంఐ వెబ్‌సైట్‌లోనే ఉంటుంది, సంస్థ పేరు కొట్టి చూసుకోండి. జాబితాలో లేని ప్రతివాడూ మోసగాడని కాదు, 35 గంటల శిక్షణ వేరేచోట తీసుకున్నా చెల్లుతుంది. లేని గుర్తింపును గోడకు తగిలించుకున్నవాడిని మాత్రం దేనికీ నమ్మలేం. పాఠం చెప్పే మాస్టారుకు పీఎంపీ ఉందో లేదో కూడా పీఎంఐ జాబితాలో పేరుతో వెతకవచ్చు.

పాస్ గ్యారంటీ గురించి రెండు ముక్కలు. ఫెయిలైతే రెండోసారి పరీక్ష రుసుము వాళ్లే కడతారని పెద్ద అక్షరాల్లో ఉంటుంది. రసీదు వెనుక చీమ తలకాయంత అక్షరాల్లో, ఒక్క క్లాసు కూడా మానకూడదని, వాళ్ల నమూనా పరీక్షలన్నింటిలో 80 శాతం దాటాలని, కోర్సు ముగిసిన మూడు వారాల్లోనే అసలు పరీక్ష రాయాలని ఉంటుంది. క్లాసులు వాళ్లే రద్దు చేసి, హాజరు తగ్గిందని మనకే చెప్పిన ఘనులు వాళ్లు.

ఉద్యోగం హామీ ఇంకా పచ్చి మాట. సర్టిఫికెట్ ఉంటే ఇంటర్వ్యూకు పిలుపు రావచ్చు. నేను చూసినంతలో కోఆర్డినేటర్‌కు మేనేజర్ హోదా ఎక్కువగా దక్కేది తను పనిచేస్తున్నచోటే. చిన్నదైనా బడ్జెట్ చేతిలో పెట్టించుకుని, లెక్క తప్పితే క్లయింటుకు తనే జవాబు చెప్పుకున్నవాళ్లకు దక్కుతుంది. అది ఏ తరగతి గదిలోనూ నేర్పరు.

ఈఎంఐలో కడుతున్నవారు మరింత జాగ్రత్తగా ఉండాలి. "వడ్డీ లేని వాయిదాలు" అంటారు గానీ, ఫోనులో ఓటీపీ చెప్పగానే ఒక ఫైనాన్స్ కంపెనీ మీ పేరున అప్పు రాసి, డబ్బును సంస్థకు పంపేస్తుంది. మీరు క్లాసులు మానేసినా, సంస్థ మూతపడినా అప్పు మీదే. కోపంతో వాయిదాలు ఆపేస్తే సిబిల్ స్కోరు దెబ్బతినేదీ మీకే, కాబట్టి ఫిర్యాదు చేస్తూనే వాయిదాలు కట్టండి. 2024 అక్టోబరు నుంచి ఇలాంటి అప్పులకు మొత్తం ఖర్చు, వడ్డీ ఒకేచోట చూపే వివరపత్రం ఇవ్వాలని రిజర్వు బ్యాంకు నిబంధన ఉంది. ఓటీపీ చెప్పకముందే అది అడగండి.

డబ్బు వెనక్కి అడిగితే మొదట "పై వాళ్లతో మాట్లాడతాం" అన్నారు, తర్వాత ఫోను ఎత్తడం మానేశారు. 1915 నంబరుకు ఫోన్ చేసి జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్‌లో నమోదు చేశాక మాత్రం తిరిగి వాళ్లే ఫోన్ చేశారు. సగం ఇస్తాం, ఫిర్యాదు వెనక్కి తీసుకోండన్నారు. తీసుకోలేదు. వినియోగదారుల కేసులు వేసే ఈ-జాగృతి పోర్టల్‌లో జిల్లా వినియోగదారుల కమిషన్‌కు కేసు వేశాను. కట్టిన మొత్తం 5 లక్షల లోపైతే రుసుము లేదు. కోచింగ్ సంస్థలు ఉద్యోగం గ్యారంటీ, పాస్ గ్యారంటీ వంటి ప్రకటనలు ఇవ్వకూడదని 2024 నవంబరులో కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ మార్గదర్శకాలు ఇచ్చింది. పోస్టర్ల ఫొటోలు తీసి పెట్టుకుని ఉంటే అవే సాక్ష్యం. కౌన్సెలర్ ఫోనులో చెప్పినవాటిని "మీరు ఇలా అన్నారు కదా" అని వాట్సాప్‌లో రాసి జవాబు రాబట్టండి.

ఇప్పటికే ఇలాంటిచోట చేరినవారికి ఒక మాట. మీ పీఎంఐ ఖాతా పాస్‌వర్డు వాళ్ల చేతిలో ఉంటే ఈ రోజే మార్చేయండి. దరఖాస్తు తెరిచి అందులోని ప్రతి ప్రాజెక్టునూ మీ కళ్లతో చదవండి. పంపకముందు ఏ వాక్యమైనా తీసేయవచ్చు, దిద్దుకోవచ్చు.