ఇంటికంతటికీ ఒకే కార్డు: ఒక బాడుగ పుస్తకాల అంగడితో మా అనుభవం

తిరుపతిలో పుస్తకాలు బాడుగకు ఇచ్చే ఒక చిన్న అంగడిలో మా ఇంటికి కొన్నేళ్ళుగా సభ్యత్వం ఉంది. డిపాజిట్టు, సభ్యత్వ రుసుము, ఆలస్యానికి జుల్మానా వంటివి ఇటువంటి చోట్ల ఇంచుమించు ఒకే తీరుగా ఉంటాయి కాబట్టి వాటి జోలికి పోను. నేను రాయదలచుకున్నది ఒకే ఒక్క సదుపాయం గురించి. ఇంటికంతటికీ ఒకే కార్డు, దానిపై నాలుగు పుస్తకాలు, ఆ నాలుగూ పిల్లల అరలోనివైనా పెద్దల అరలోనివైనా అడిగేవారు లేరు. ఆ పద్ధతి సాగినంతకాలం అడిగినవారికీ అడగనివారికీ ఆ అంగడిని సిఫారసు చేశాను. తరువాత జరిగిన మార్పు చూశాక ఆ సిఫారసుకు కొన్ని షరతులు చేర్చక తప్పడం లేదు.

అక్కడి సరుకు ఎక్కువేమీ కాదు గాని రకరకాలుగా ఉంటుంది. పై అరల్లో నవలలు, కథల సంపుటాలు, తిరుమల తిరుపతి దేవస్థానం ప్రచురణలు, పోటీ పరీక్షల పుస్తకాలు ఉంటాయి. కింది అరల్లో నేషనల్ బుక్ ట్రస్టువారి నెహ్రూ బాల పుస్తకాలయం, ప్రథమ్ బుక్స్ వారి పలచని బొమ్మల పుస్తకాలు, వాటికంటే ఎక్కువగా ఇంగ్లీషు పిల్లల పుస్తకాలు. గల్లాపెట్టె వెనుక అద్దాల బీరువాలో చందమామ పాత సంచికల బైండు పుస్తకాలు.

మా అత్తగారికి వయసుతోపాటు రెటీనా మధ్యభాగం దెబ్బతింది. ఈ జబ్బులో పక్కచూపు నిలుస్తుంది గాని చదవడానికి అక్కరకు వచ్చే నడిమి చూపు మసకబారుతుంది. అందుచేత కళ్ళజోడు మార్చినంత మాత్రాన అక్షరం తేటపడదు, అక్షరమే పెద్దది కావాలి. భూతద్దం కొని ఇచ్చాము. దాని కింద రెండు మూడు పదాలకు మించి ఇమడవు, పైగా మన లిపిలో పైన గుడులూ కింద వత్తులూ ఉంటాయి కనుక అద్దం రవ్వంత జారితే ఒక వరుసలోని వత్తు ఏదో, దాని కింది వరుసలోని గుడి ఏదో ఆవిడకు అంతుబట్టేది కాదు. మన నవలలు మామూలుగా పదకొండు, పన్నెండు పాయింట్ల అక్షరంతో వస్తాయి. పుటలు తగ్గించుకోవడానికి వరుసల నడుమ ఎడాన్ని కూడా కుదించినవి కొన్ని. పిల్లల పుస్తకంలో అక్షరం దానికి ఒకటిన్నర రెట్లో రెండు రెట్లో ఉంటుంది, వరుసకూ వరుసకూ నడుమ చోటు ధారాళంగా ఉంటుంది. మనవరాలి కోసం తెచ్చిన ఒక బొమ్మల పుస్తకాన్ని ఆవిడ కిటికీ పక్కకు తీసుకుపోయి, ఎవరి సాయమూ లేకుండా మొదటి నుంచి చివరి దాకా చదివేశారు. చదువు ఇక తన వంతు కాదని వారపత్రికలు కూడా మాన్పించిన మనిషి ఆవిడ. ఆ నెల నుంచి మా కార్డుపై కనీసం రెండు పుస్తకాలు కింది అరల నుంచే వచ్చేవి.

మేము ఎదురుచూడని లాభం మా అమ్మాయికి కలిగింది. ఆమె ఇంగ్లీషు మాధ్యమంలో ఆరో తరగతి చదువుతోంది. తెలుగు ధారాళంగా మాట్లాడుతుంది గాని చదవడంలో సంయుక్తాక్షరం ఎదురైతే నిలిచిపోతుంది. ఆమె స్థాయికి సరిపోయే పుస్తకం ఇస్తే చిన్నపిల్లలదని పక్కన పెట్టేది, వయసుకు తగినది ఇస్తే మూడో పుట దాటేది కాదు. అవ్వకోసం పుస్తకాలు ఎంచడం తన పని అయ్యాక మాత్రం ఆ చిక్కు దానంతట అదే విడిపోయింది. అక్షరం పెద్దదా చిన్నదా, కథ అవ్వకు నచ్చుతుందా లేదా అని అంగడిలోనే నిలబడి చదివి చూసేది, ఇంటికి వచ్చాక అవ్వ పొరబడిన పదాన్ని దిద్దాలని మళ్ళీ చదివేది. అవి చిన్నపిల్లల పుస్తకాలన్న మాట ఇంట్లో ఎవరికీ గుర్తు రాలేదు.

పై అరల నుంచి కిందికి కూడా రాకపోకలు సాగాయి. నామిని సుబ్రహ్మణ్యం నాయుడు గారి 'పచ్చనాకు సాక్షిగా' పెద్దల అరలో ఉండేది. మన ఉమ్మడి చిత్తూరు జిల్లా పల్లె మాటలో ఒక పిల్లవాడి నోట చెప్పిన కథలవి. నేను బిగ్గరగా చదువుతుంటే మా అత్తగారు తన చిన్ననాటి మాటలు విని మురిసిపోయారు, మా అమ్మాయి పాఠ్యపుస్తకంలో ఎన్నడూ కనబడని ఆ తెలుగును విని పగలబడి నవ్వింది. మధురాంతకం రాజారాం గారి కథలు, 1993లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చిన సంపుటం, ఆ కార్డుపైనే మా ఇంటికి వచ్చాయి. మా అత్తగారిది దామలచెరువు పక్కనే ఉన్న పల్లె కావడంవల్ల ఆ ఊళ్ళ మనుషుల సంగతులు ఎన్నిసార్లు చదివించుకున్నా ఆవిడకు విసుగు పుట్టలేదు.

ఇలా ఉండగా అంగడివారు కొత్త సాఫ్ట్‌వేర్ పెట్టించారు. ప్రతి పుస్తకానికీ బార్‌కోడు, దాని పక్కన వయసు చూపే రంగు చీటీ వచ్చాయి. మూడు నుంచి అయిదేళ్ళకు ఒక రంగు, ఆరు నుంచి ఎనిమిదికి ఒకటి, తొమ్మిది నుంచి పన్నెండుకు ఒకటి, పెద్దలకు వేరొకటి. ఇంటి కార్డు రద్దయి దాని స్థానంలో రెండు పుస్తకాల పెద్దల కార్డు, రెండు పుస్తకాల పిల్లల కార్డు ఇచ్చారు. మొత్తం నాలుగే కదా, నష్టమేమిటని మొదట నాకూ తోచింది. ఆ శనివారం మా అత్తగారు మనవరాలిని వెంటబెట్టుకుని వెళ్ళి, పెద్ద అక్షరాలున్న నాలుగు పుస్తకాలు ఏరుకుని గల్లాపెట్టె దగ్గర పెట్టారు. అక్కడి కుర్రవాడు రెండింటిని యంత్రానికి చూపి, "అవ్వా, ఇవి పిల్లల పుస్తకాలు, పెద్దల కార్డుకు కంప్యూటరు తీసుకోదు" అన్నాడట. ఆవిడ ఊరుకునే మనిషి కాదు. "బొమ్మలుంటే పిలకాయల పుస్తకమైపోతుందా నాయనా? అచ్చరాలు పెద్దగా ఉండాయి, నాకు కనపడతా ఉండాయి. ఎవురి పేరు మీదన్నా రాసుకో, చదివేది నేనే గదా" అన్నారు. వెనుక వరుసలో నలుగురైదుగురు ఉన్నారు. వాళ్ళలో మా అమ్మాయి బడిలోని పిల్ల ఒకతె. కుర్రవాడు మర్యాదగానే, సమస్య తీర్చాలనే ఉద్దేశంతోనే, మిగిలిన రెండింటిని ఎత్తి చూపి, "ఇవి ఆరు నుంచి ఎనిమిదేళ్ళవి, పాప కార్డుకు రాసేస్తాను" అన్నాడు. మా అమ్మాయి వాటిని తీసుకుపోయి అరలో పెట్టేసింది. ఇద్దరూ వట్టి చేతులతో ఇంటికి వచ్చారు. అవ్వకోసం పుస్తకాలు ఎంచే పని నాటి నుంచి నాకు బదిలీ అయింది. ఆ పిల్ల తెలుగు చదువు ఎక్కడ ఆగిందో వేరే చెప్పనక్కరలేదు.

నా ఫిర్యాదు వర్గీకరణ మీద కాదు, వయసును కొలతగా తీసుకోవడం మీద. 2004లో మొదలైన ప్రథమ్ బుక్స్ తన కథల పుస్తకాలకు ఒకటి నుంచి నాలుగు దాకా స్థాయిలు ఇస్తుంది. అవి చదివేవారి నేర్పును చెబుతాయి గాని వారు పుట్టిన సంవత్సరాన్ని అడగవు. రెండో స్థాయి పుస్తకం ఏడేళ్ళ పిల్లకు ఎంత పనికివస్తుందో, తెలుగు ఆలస్యంగా నేర్చుకుంటున్న పన్నెండేళ్ళ పిల్లకూ, కళ్ళు సరిగా కనిపించని డెబ్భై ఏళ్ళ అవ్వకూ అంతే పనికివస్తుంది. మా అంగడిలో వయసు చీటీని సరిగ్గా ఆ స్థాయి గుర్తుపైనే అంటించారు! పైన చెప్పిన నామిని గారి పుస్తకానికి పెద్దల రంగు పడింది కనుక పిల్లవాడి నోటి కథలు పిల్లల కార్డుకు రావు. అన్నిటికంటే విడ్డూరం చందమామకు జరిగింది. 1947 జూలైలో మొదలైనప్పటి నుంచి ఇంటిల్లిపాదీ చదివిన ఆ పత్రికకు ఏ రంగు వేయాలో తెలియక బైండు పుస్తకాల్లో కొన్నింటికి తొమ్మిది పన్నెండేళ్ళ చీటీ, కొన్నింటికి పెద్దల చీటీ అంటించారు. వరుసగా వచ్చే సీరియలు చదవాలంటే రెండు కార్డులూ పట్టుకుపోవాలి.

యజమానితో మాట్లాడాను. ఆయన ఓపికగానే విన్నారు. పిల్లల పుస్తకాలు పెద్దల కార్డుపై ఎక్కువగా పోతే శని, ఆదివారాల్లో పిల్లలకు మిగలడం లేదని తల్లిదండ్రులు అడుగుతున్నారని, వయసు తెలియకుండా పుస్తకం ఎంచడం చాలామందికి కష్టమవుతోందని చెప్పారు. రెండో మాటలో నిజముంది. కొత్తగా చేరేవారికి ఆ చీటీ దారి చూపుతుంది. మా విషయంలో కంప్యూటరును పక్కన పెట్టి నోటు పుస్తకంలో చేత్తో రాసి ఇవ్వడానికి ఒప్పుకున్నారు, కొత్తగా వచ్చిన పుస్తకాలకు చీటీని అట్టపై కాకుండా వెనుక అట్ట లోపలి వైపు అంటిస్తున్నారు. పాతవి అలాగే ఉన్నాయి. ఆయన లేని రోజున వెళితే నోటు పుస్తకం ఎక్కడుందో కుర్రవాడికి తెలియదు.

పెద్ద అక్షరాల గురించి నేను మొదట్లో చెప్పిన పొగడ్తను కూడా కొంత సవరించాలి. పిల్లల పుస్తకాలన్నీ చూపు తగ్గినవారికి అనుకూలం కావు. ముదురు నీలం ఆకాశం మీద తెల్ల అక్షరాలు, చెట్ల ఆకుల నడుమ నల్ల అక్షరాలు అచ్చువేసిన పుటలు చూడడానికి బాగుంటాయి గాని మా అత్తగారికి అక్కడ వాక్యం ఉన్నదన్న సంగతే తెలియదు. తెల్లని చోట నల్లని అక్షరం విడిగా ఉన్న పుస్తకాలు ఏరుకోవాలి, అవి తక్కువ. ఇంకొక లోటు, కథలు చిన్నవి కావడం. నాలుగు పుస్తకాలు ఒక మధ్యాహ్నానికే చెల్లిపోతాయి. ఆవిడకు కావలసింది పెద్ద అక్షరంలో పెద్ద కథ. అటువంటి తెలుగు పుస్తకం ఆ అంగడిలో ఒక్కటి కూడా దొరకలేదు, కాబట్టి రాజారాం గారి కథలు ఇప్పటికీ నేనే చదివి వినిపిస్తున్నాను. ప్రథమ్ బుక్స్ వారు 2015లో తెచ్చిన స్టోరీవీవర్ అనే వెబ్‌సైటులో ఇటువంటి పిల్లల పుస్తకాలు ఉచితంగా దొరుకుతాయి, తెరపై అక్షరాన్ని పెంచుకోవచ్చు. ఇంట్లో ట్యాబ్ ఉన్నవారు కేవలం వాటికోసం బాడుగ కట్టనక్కరలేదు. మా అత్తగారికి తెర వెలుతురు పడదు, కళ్ళ వెంట నీళ్ళు కారతాయి, అందువల్ల మాకు కాగితమే గతి.

ఇక సభ్యత్వం తీసుకోవాలా వద్దా అన్నది మీ ఇంటి పరిస్థితిని బట్టి ఉంటుంది. పిల్లలు తమ వయసుకు తగ్గట్టు తెలుగు చదువుతూ, పెద్దలకు చూపు బాగుండి, ఎవరి అరలో వారు ఎంచుకునే ఇల్లయితే ఈ రెండు కార్డుల పద్ధతి మీకు అడ్డం రాదు, బహుశా సదుపాయంగానే ఉంటుంది. పిల్లలు వేగంగా చదివేవారైతే కింది అరల్లోని తెలుగు పుస్తకాలు ఏడాది తిరక్కుండానే అయిపోతాయి, ఆ తరువాత ఇంగ్లీషే మిగులుతుంది. మా ఇంటికి అంగడి నడిచి వెళ్ళేంత దగ్గర, యజమానికి మా సంగతి తెలుసు, అందుకని కొనసాగుతున్నాము. అయితే ఏటా సంవత్సరానికి కట్టే రుసుమును ఈసారి ఆరు నెలలకే కట్టాను. అట్టలపై మిగిలిన పాత చీటీలు ఈలోగా లోపలికి మారితే మళ్ళీ సంవత్సరానికి కడతాను.