ఆర్‌ఏసీ ఎరీనా, పర్త్: పై వరుస నుంచి చూసిన లోమచెంకో

2024 మే 12, ఆదివారం. పై వరుసలో టికెట్ దొరికింది. అంత దూరం నుంచి రింగ్ అగ్గిపెట్టెలా కనిపిస్తుందేమోనని టెన్షన్ పడ్డాను. కానీ ఉక్రెయిన్ బాక్సర్ వసిల్ లోమచెంకో పాదాలు అక్కణ్నుంచే స్పష్టంగా కనిపించాయి. నేను డబ్బు పెట్టింది ఆ పాదాల కోసమే. ప్రత్యర్థి జార్జ్ కాంబోసోస్ మీదికొస్తే చాలు, అరడుగు పక్కకు జరిగి అక్కణ్నుంచి కొట్టేవాడు.

లోమచెంకో రెండు ఒలింపిక్ స్వర్ణాలు గెలిచిన మనిషి. అప్పటికి 36 ఏళ్లు. అంతకు ఏడాది కిందట డెవిన్ హేనీ చేతిలో పాయింట్ల మీద ఓడాడు. నా లెక్కలో ఆ రాత్రి గెలిచింది లోమచెంకోనే, ఇప్పటికీ అదే అంటాను. పర్త్‌లో జనం తమ ఆస్ట్రేలియా వాడైన కాంబోసోస్ కోసం గొంతు చించుకున్నారు. పదకొండో రౌండ్‌లో పొట్టకు తగిలిన దెబ్బతో అతను కూలబడ్డాడు. నా పక్కాయన తనకే తగిలినట్టు పొట్ట పట్టుకున్నాడు. కాసేపటికే పోటీ ముగిసింది, ఐబీఎఫ్ (అంతర్జాతీయ బాక్సింగ్ సమాఖ్య) లైట్‌వెయిట్ టైటిల్ బెల్ట్ లోమచెంకోకు దక్కింది.

అదే ఆయన చివరి పోటీ. 2025 జూన్‌లో రిటైర్మెంట్ ప్రకటించాడు.

ఇక్కడ బాక్సింగ్ చూడాలంటే పై వరుసలే తీసుకోండి. ముందువాళ్ల తలలు అడ్డురావు, కాళ్ల పని మొత్తం కనిపిస్తుంది.