పాస్తా బేక్: ఉడికించాలా, నానబెట్టాలా, ఎండుదే వేసేయాలా?

ఇంట్లో చేసిన పాస్తా బేక్ చెడితే ఎక్కువగా రెండు రకాలుగా చెడుతుంది. ఒక్కోసారి పైన చీజ్ చక్కగా ఎర్రబడినా లోపల పాస్తా ముద్దయిపోయి ఉంటుంది. ఇంకోసారి సాస్ అంతా ఇంకిపోయి, పాస్తా పొడిపొడిగా గొంతుకు అడ్డం పడుతుంది. అప్పుడు చాలామంది చీజ్ మారుస్తారు, లేదా ఓవెన్ వేడి తగ్గించి చూస్తారు. నన్నడిగితే ఆ రెండింటికన్నా ముందు చూసుకోవాల్సింది నీళ్ల లెక్క. పాస్తా తాగే నీళ్లు ఎక్కడినుంచి వస్తున్నాయి, ఎప్పుడు వస్తున్నాయి? ఇది తేలితే మిగతా సగం పని దానంతటదే సర్దుకుంటుంది.

ఎండు పాస్తా పూర్తిగా ఉడికేసరికి దాని బరువు దాదాపు రెట్టింపు అవుతుంది, ఒక్కోసారి ఇంకాస్త పెరుగుతుంది. అంటే 400 గ్రాముల పాస్తా 400 నుంచి 500 మిల్లీలీటర్ల దాకా నీళ్లు పీల్చుకుంటుంది. అయిదారుగురికి సరిపోయే 23 × 33 సెంటీమీటర్ల ట్రేకి ఈ కొలత బాగా కుదురుతుంది కాబట్టి ఇక్కడ చెప్పే లెక్కలన్నీ 400 గ్రాములకే. ఆ నీళ్లు మరిగే గిన్నెలోనైనా పట్టాలి, నానబెట్టిన గిన్నెలోనైనా పట్టాలి, లేదంటే ట్రేలో సాస్ నుంచైనా లాక్కోవాలి. మూడు పద్ధతులకూ తేడా అంతా ఇక్కడే ఉంది.

ముందుగా అందరికీ అలవాటైన పద్ధతి, నీళ్లలో ఉడికించి ఆ తర్వాత బేక్ చేయడం. దీనిలో పెద్ద చిక్కు ఏమిటంటే, ప్యాకెట్ మీద రాసిన నిమిషాలు వెంటనే తినే పాస్తా కోసం. ఓవెన్‌లోకి వెళ్లేదానికి ఆ సమయం చాలా ఎక్కువ. ట్రేలో అరగంటపాటు కుతకుతలాడే సాస్ మధ్య అది ఇంకా ఉడుకుతూనే ఉంటుంది. ప్యాకెట్ మీద 11 నిమిషాలని ఉంటే 6 లేదా 7 నిమిషాలకే దించేయాలి. ఒక ముక్క తీసి కొరికితే మధ్యలో సన్నటి తెల్లని గీత కనబడాలి, పంటికి గట్టిగా తగలాలి. ‘ఇది ఇంకా ఉడకలేదు’ అనిపించే దశే సరైన దశ. నీళ్లలో లీటరుకు దాదాపు 10 గ్రాముల ఉప్పు వేస్తే పాస్తాకి లోపలికంటా రుచి పడుతుంది.

ఈ పద్ధతిలో గొప్ప సుఖం ఏమిటంటే, పాస్తా ఏ దశలో ఉందో మనకి పంటితో తెలుస్తుంది. పైగా పిండి దిగిన ఆ నీళ్లు ఒక కప్పు పక్కన పెట్టుకుంటే సాస్ చిక్కబడినప్పుడు పలచన చేయడానికి పనికొస్తాయి. సమస్యల్లా వడకట్టిన తర్వాతే. చిల్లుల గిన్నెలో ఆవిరి కక్కుతూ కూర్చున్న పాస్తా తన వేడికి తానే మెత్తబడుతూ ఉంటుంది, ఒకదానికొకటి అతుక్కుంటుంది. అందుకే సాస్ ముందే సిద్ధంగా ఉండాలి, వడకట్టగానే అందులో కలిపేయాలి. అతుక్కోకుండా నూనె పట్టించే అలవాటు నాకు నచ్చదు. నూనె పట్టిన పాస్తాకి సాస్ సరిగ్గా అంటుకోదు.

రెండోది ఎండు పాస్తానే ట్రేలో పోసి, పైన పలచటి సాస్ పోసి, ఫాయిల్ మూసి ఓవెన్‌లో పెట్టేయడం. గిన్నె కడిగే పని లేదు, నీళ్లు మరిగించే పని లేదు, అందుకే దీనికి అంత ఆకర్షణ. కానీ ఇక్కడ నీళ్ల లెక్కలో కాస్త కూడా పొరపాటు పనికిరాదు. 400 గ్రాములకి సాస్, నీళ్లు కలిపి లీటరుంపావు దాకా ఉండాలి. ట్రేలో పోసినప్పుడు ‘ఇదేమిటి, చారులా ఉంది’ అనిపిస్తుంది. అలాగే ఉండాలి. పాస్తా మొత్తం మునగాలి, ఫాయిల్ అంచుల వెంబడి గట్టిగా బిగించాలి. 200 డిగ్రీల సెల్సియస్‌లో 40 నుంచి 50 నిమిషాలు పడుతుంది, ఎందుకంటే మరిగే నీళ్లలో కన్నా సాస్‌లో పాస్తా నెమ్మదిగా ఉడుకుతుంది. మధ్యలో ఒకసారి తీసి కలపకపోతే పైకి తేలిన ముక్కలు గట్టిగానే మిగిలిపోతాయి.

దీనిలో మంచి గుణం ఒకటుంది, దాన్ని తక్కువ చేయకూడదు. నీళ్లలో వదిలేసే పిండి అంతా ఇక్కడ సాస్‌లోనే ఉంటుంది కాబట్టి పలచటి టమాటా సాస్ తనంతట తానే చిక్కబడి పాస్తాని పట్టుకుంటుంది. అదే గుణం వెన్న, మైదా, పాలతో చేసే వైట్ సాస్‌కి శాపం. అందులో అప్పటికే మైదా ఉంది. దానికి పాస్తా వదిలిన పిండి కూడా తోడైతే చల్లారేసరికి జిగురుముద్ద తయారవుతుంది. ఉప్పు విషయం కూడా గుర్తుంచుకోవాలి. ఎండు పాస్తాలో మామూలుగా ఉప్పు ఉండదు. నీళ్లలో ఉడికించే దశ ఎత్తేసినప్పుడు ఆ ఉప్పు సాస్‌లోనే పడాలి, అంటే సాస్ రుచి చూస్తే నాలుకకి కాస్త ఎక్కువే అనిపించాలి.

ఇక నానబెట్టడం. మూడింటిలో తక్కువ పేరున్నది ఇదే, నాకు ఎక్కువ ఇష్టమైనదీ ఇదే. దీని వెనక ఉన్న సంగతి చెప్పకుండా ముందుకెళ్లలేను. పాస్తా ఉడకడం అని మనం ఒక్క మాటలో అనేస్తాం గానీ అందులో రెండు పనులు జరుగుతాయి. ఒకటి నీళ్లు లోపలికి ఇంకడం, రెండోది ఆ తడిసిన పిండి వేడికి ఉబ్బి మెత్తబడడం. మొదటి పనికి వేడి అక్కర్లేదు, సమయం చాలు. రెండో పని దాదాపు 60 డిగ్రీలు దాటాకే మొదలవుతుంది. మరిగే నీళ్లలో రెండూ ఒకేసారి జరిగిపోతాయి కాబట్టి ఒక్క పనే అనిపిస్తుంది. ఈ రెండింటినీ విడదీస్తే, ఇంకడం గిన్నెలో, మెత్తబడడం ఓవెన్‌లో జరుగుతాయి. అప్పుడు పాస్తా సాస్‌ని తాగేయదు, ఎందుకంటే దానికి కావలసిన నీళ్లు చాలావరకు అప్పటికే దానిలో ఉన్నాయి. అతిగా ఉడికిపోయే భయమూ తక్కువ, ఎందుకంటే ఓవెన్‌లోకి వెళ్లేదాకా అది ఉడకడమే మొదలుపెట్టలేదు.

చేయడం చాలా తేలిక. పెన్నే, జీటి లాంటి గొట్టం పాస్తాని వెడల్పాటి గిన్నెలో వేసి, బాగా వేడిగా ఉన్న ఉప్పునీళ్లు మునిగేదాకా పోసి అరగంట వదిలేయాలి. నీళ్లు మరుగుతూ ఉండకూడదు. చెయ్యి పెట్టలేనంత వేడి ఉంటే చాలు, అవి నెమ్మదిగా చల్లారిపోతాయి. మొదటి అయిదు నిమిషాల్లో రెండు మూడు సార్లు కలపాలి, లేకపోతే పైన పిండి తడిసి ముక్కలు జంటలుగా అంటుకుపోతాయి. అరగంట తర్వాత పాస్తా పాలిపోయి, వంచితే వంగేలా ఉంటుంది, కొరికితే పచ్చిపిండి రుచి వస్తుంది. దాన్ని చూసి కంగారు పడి స్టవ్ మీద పెట్టకండి. వడకట్టి సాస్‌లో కలిపి, ఫాయిల్ మూసి, 200 డిగ్రీల్లో 30 నుంచి 35 నిమిషాలు, తర్వాత ఫాయిల్ తీసి ఇంకో 10 నుంచి 15 నిమిషాలు. లజానియా రేకులకైతే వేడి నీళ్లలో 15 నిమిషాలు చాలు, వాటిని ఒకదానిమీద ఒకటి సరిగ్గా పడి అతుక్కోకుండా అడ్డదిడ్డంగా వేయాలి.

నానబెట్టిన పాస్తాకి ఒక షరతు ఉంది. ట్రే మధ్యభాగం దాకా వేడి బాగా చేరాలి. అందుకని సాస్ వేడిగా ఉన్నప్పుడే కలపాలి, మరీ చిక్కగా ఉండకూడదు. టమాటా సాస్‌తో ఇది సులువు. మొత్తం వైట్ సాస్‌తోనే చేసే మాకరోని చీజ్ లాంటి వంటకానికి మాత్రం నేను నానబెట్టమని చెప్పను. చిక్కటి వైట్ సాస్ గుండా వేడి లోపలికి నెమ్మదిగా పోతుంది. పాస్తా మెత్తబడేదాకా ఉంచితే చీజ్ నూనె వదిలేస్తుంది, సాస్ పలుకు పలుకుగా విరుగుతుంది. దానికి సగం ఉడికించిన పాస్తానే సరి. ఓవెన్‌లో 20 నిమిషాల్లో పని అయిపోవాలి.

గ్లూటెన్ లేని పాస్తాకి కూడా నానబెట్టడం నమ్మకమైన దారి కాదు. దురుమ్ గోధుమ రవ్వతో చేసిన పాస్తాలో ఉండే గ్లూటెన్ అల్లికే ముక్కని ఇంతసేపు నీళ్లలో విడిపోకుండా పట్టి ఉంచుతుంది. అది లేనివాటిని కొద్దిసేపు ఉడికించి వెంటనే వాడుకోవడమే మేలు. గుడ్డుతో కలిపి చేసిన తాజా రేకులకి ఈ తర్జనభర్జనే అనవసరం, వాటిలో తేమ ఉంది కాబట్టి కాస్త పలచటి సాస్ మధ్య నేరుగా పరిచేయొచ్చు.

టమాటా సాస్, వైట్ సాస్‌ల మధ్య పోటీ పెడితే ఒక్కటే ఎంచుకోవాల్సిన పని లేదు. కడుపునిండా తినే వంటకం కావాలనుకుంటే రెండూ ఉండాలి. ఇటలీలో ఎమీలియా రొమాన్యా ప్రాంతపు లజానియాలో మాంసపు సాస్, వైట్ సాస్ పొరలు పొరలుగా వస్తాయి. గ్రీకుల పస్తిత్సియోలో గొట్టం పాస్తా మీద మాంసపు సాస్, దానిమీద మందపాటి వైట్ సాస్ పొర ఉంటుంది. ఆ ఆలోచన చాలా తెలివైనది. టమాటా పులుపు లోపల, వెన్న కమ్మదనం పైన. పైగా వైట్ సాస్ పొర మూతలా పనిచేసి కింద పాస్తా ఎండకుండా కాపాడుతుంది. నేను చెప్పే బేక్‌కి పాస్తాని లీటరు టమాటా సాస్‌లో కలిపి, పైన అర లీటరు పాలతో చేసిన వైట్ సాస్ పోయాలి. దానికి 40 గ్రాముల వెన్న కరిగించి, 40 గ్రాముల మైదా వేసి, పచ్చివాసన పోయేదాకా రెండు నిమిషాలు సన్నటి మంట మీద వేపి, పాలు కొద్దికొద్దిగా పోస్తూ గరిటెతో ఆపకుండా కలపాలి. ఉప్పు, మిరియాలు, చిటికెడు జాజికాయ పొడి. సాస్ గరిటె వెనక వైపు పూతలా పట్టి, వేలితో గీస్తే దారి నిలిచేంత చిక్కదనం చాలు.

మాంసం వేస్తే ముందే పూర్తిగా వేయించి ఉడికించి వేయాలి, ఓవెన్‌లో ఉడుకుతుందిలే అని వదిలేయకూడదు. పుట్టగొడుగులు, వంకాయ, పాలకూర వేస్తే వాటి నీళ్లు పెనం మీదే ఇగిరిపోనివ్వాలి. లేదంటే అవి వదిలే నీళ్లు మన లెక్కని తలకిందులు చేస్తాయి.

చీజ్ సంగతి త్వరగా చెప్పేస్తాను. సాగడానికి తేమ తక్కువున్న మొజరెల్లా, ఎర్రబడి రుచి రావడానికి పార్మెజాన్ లాంటి గట్టి చీజ్. తాజా మొజరెల్లా వాడితే ముక్కలు చేసి అరగంట గుడ్డ మీద ఆరనివ్వాలి. తురిమి అమ్మే చీజ్‌కి అంటుకోకుండా పిండిలాంటి పూత ఉంటుంది, అది కరిగినా ఇంట్లో తురిమినదంత నునుపుగా కలవదు. ఫాయిల్ తీశాకే చీజ్ చల్లితే మాడదు, ఫాయిల్‌కీ అతుక్కోదు.

ఓవెన్ నుంచి తీశాక పావుగంట ఆగడం గురించి మాత్రం నేను రాజీపడను. ఆ పావుగంటలో సాస్ చిక్కబడుతుంది, ముక్క కోస్తే నిలబడుతుంది. వెంటనే కోస్తే ట్రే అడుగున నీళ్లు కనబడి, అనవసరంగా ఇంకోసారి ఓవెన్‌లో పెట్టి ఎండబెట్టేస్తారు.

ముందురోజే సిద్ధం చేసి పెట్టుకునేవాళ్లకైతే నా ఓటు పూర్తిగా నానబెట్టినదానికే. సగం ఉడికిన పాస్తా ఫ్రిజ్‌లో రాత్రంతా సాస్ తాగుతూ మెత్తబడుతుంది. ఎండు పాస్తా అయితే పొద్దునకి సాస్‌లో నీళ్లన్నీ లాగేస్తుంది, మళ్లీ ఎంత పోయాలో తెలియదు. నానినది అప్పటికే నీళ్లు పట్టి ఉంది, చల్లదనంలో పిండి ఉడకదు, కాబట్టి పెద్దగా మారదు. అయితే ఇలా చేసేటప్పుడు సాస్‌ని చల్లార్చి కలపాలి, మరుసటి రోజు ఫాయిల్ మూసి ఉంచే సమయాన్ని ఇంకో 15 నిమిషాలు పెంచాలి. గాజు ట్రే అయితే ఫ్రిజ్‌లోంచి తీసి నేరుగా వేడి ఓవెన్‌లో పెట్టకండి, ఆ తేడాకి అది పగిలిపోవచ్చు. కాసేపు బయట ఉంచండి, లేదా రేకు ట్రే వాడండి.

మిగిలినదాన్ని రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెడితే మూడు నాలుగు రోజులు ఉంటుంది. మళ్లీ వేడి చేసేటప్పుడు ఒక్కో ముక్క మీద రెండు చెంచాల నీళ్లో పాలో చిలకరించి, ఫాయిల్ మూసి, 170 డిగ్రీల్లో మధ్యలోంచి ఆవిరి వచ్చేదాకా ఉంచండి.