పది యెన్ల కడ్డీ పదిహేను యెన్లకు చేరాక: జపాన్ మిఠాయిలపై ఒక దీర్ఘకాలపు సమీక్ష

టోక్యో తూర్పు అంచున ఎదొగవా వార్డులో పదేళ్లకు పైగా కాపురముంటూ నేను కొన్నవీ, తిన్నవీ, పిల్లలకు పెట్టినవీ, సెలవులకు ఊరికి మోసుకెళ్లినవీ అయిన జపాన్ మిఠాయిల గురించీ చిరుతిళ్ల గురించీ ఈ సమీక్ష రాస్తున్నాను. నా అభిప్రాయాన్ని ముందే చెబుతాను. విమానాశ్రయంలో మెరిసే బహుమతి పెట్టెలను చూసి ఈ పరిశ్రమను అంచనా వేయకూడదు. దాని అసలు పనితనం వంద, రెండు వందల యెన్లలోపు దొరికే రోజువారీ పొట్లాల్లో ఉంది, ఇప్పుడు ధరల భారం ఎక్కువగా పడుతున్నదీ ఆ పొట్లాల మీదే.

ఉమాయిబో అనే మొక్కజొన్న కడ్డీ 1979లో పది యెన్లకు అమ్మకానికి వచ్చింది. నలభై ఏళ్లకు పైగా అదే ధరకు నిలిచి, 2022 ఏప్రిల్‌లో 12 యెన్లకు, 2024 అక్టోబరులో 15 యెన్లకు చేరింది. ఇంత చవక వస్తువుకు కూడా ఒక్కో కడ్డీకి విడిగా గాలి చొరని కవరు ఉంటుంది. నడుమ బోలుగా ఉండే ఆ కడ్డీ నెలల తర్వాత విప్పినా మెత్తబడకుండా కరకరలాడుతుంది. మొరినాగా సంస్థ 1973 నుంచి చేస్తున్న రమునె బిళ్లల్లో తొంభై శాతం గ్లూకోజే. నోట్లో వేసుకోగానే చల్లగా కరిగిపోయే ఈ బిళ్లలను పిల్లల కోసమే చేసినా, మధ్యాహ్నం మూడు దాటాక బుర్ర పనిచేయని ఉద్యోగులు కూడా వాటిని బల్లమీద పెట్టుకుంటున్నారు. దాన్ని గమనించిన సంస్థ 2018లో పెద్దవాళ్ల కోసం పెద్ద బిళ్లలను కూడా తెచ్చింది. మియె ప్రాంతపు ఇమురాయా సంస్థ చేసే అజుకి బార్ కూడా 1973 నాటిదే. అందులో ఉండేవి చక్కెర, అజుకి అనే చిన్న ఎర్ర గింజలు, గంజితో చేసిన తీపి పాకం, మొక్కజొన్న పిండి, ఉప్పు మాత్రమే. రంగు, సువాసన ద్రవ్యం, పాలు ఏవీ లేని ఈ ఐసు పుల్ల పళ్లకు సవాలు విసిరేంత గట్టిగా ఉంటుంది. కొద్దిసేపు ఆగి కొరికితే గింజల రుచి స్పష్టంగా తెలుస్తుంది. నేను ఎక్కువసార్లు కొన్న తీపి ఇదే, ఇన్నేళ్లలో ఒక్కసారి కూడా నాణ్యత తగ్గినట్టు అనిపించలేదు.

అన్నిటి గురించీ ఇదే మాట చెప్పలేను. 1990ల మొదట్లో విపరీతంగా ఉబ్బిన భూముల, షేర్ల ధరలు కూలాక జపాన్‌లో జీతాలు దాదాపు మూడు దశాబ్దాలు కదల్లేదు. ధర పెంచితే కొనేవాడు అలవాటు మానేస్తాడన్న భయంతో తయారీదారులు ధరను అలాగే ఉంచి గ్రాములు తగ్గించే దారి పట్టారు. మెయిజీ మిల్క్ చాక్లెట్ 1926 నుంచి ఉన్న సరుకు. ఒకప్పుడు 70 గ్రాములున్న ఆ పలక మెట్టు మెట్టుగా 50 గ్రాములకు దిగింది. బిస్కెట్ పెట్టెలూ, బంగాళదుంప చిప్సూ ఇదే బాట పట్టాయి. పొట్లం ఎత్తు, వెడల్పు పెద్దగా మారకపోవడం వల్ల పక్కపక్కన పెట్టి చూస్తే తప్ప తేడా పట్టుబడదు. 2022 తర్వాత యెన్ బలహీనపడి గోధుమలు, నూనెలు, చక్కెర, కరెంటు అన్నీ ప్రియమయ్యాక, సంస్థలు దాచకుండా ధరలు పెంచడం మొదలుపెట్టాయి. కొనుగోలుదారుగా నేను ఈ బహిరంగ పెంపునే ఇష్టపడతాను, ఎందుకంటే ఎంత పెట్టి ఎంత తింటున్నానో అప్పుడు నాకు తెలుస్తుంది.

సరఫరా ఎంత సన్నని దారం మీద నడుస్తుందో 2017 వసంతంలో చూశాను. అంతకుముందు ఏడాది ఉత్తరాన ఉన్న హొక్కైదో దీవిని వరుస తుపానులు ముంచెత్తి బంగాళదుంప పంట దెబ్బతినడంతో కాల్బీ సంస్థ చాలా రకాల చిప్స్ అమ్మకాన్ని ఆపింది. మా వీధి చివరి సూపర్ మార్కెట్‌లో అరలు ఖాళీగా, క్షమాపణ కాగితం అంటించి కనిపించేవి. అదే ఏడాది మెయిజీ 1968 నుంచి అమ్ముతున్న కార్ల్ అనే మొక్కజొన్న చిరుతిండిని తూర్పు జపాన్‌లో పూర్తిగా మానేసి పడమటి ప్రాంతాలకే పరిమితం చేసింది. టోక్యోలో పెరుగుతున్న మా పిల్లలకు అది ఒసాకా వెళ్లినవాళ్లు తెచ్చిపెట్టే వస్తువైపోయింది. అమ్మకం తగ్గితే యాభై ఏళ్ల పేరున్న సరుకైనా నిలవదు. ఇక్కడి పరిశ్రమలో ఈ కఠినత్వం ఉంది.

చాక్లెట్ విషయంలో మార్పు ఇంకా లోతైనది. జపాన్‌కు వచ్చే కోకో గింజల్లో అధిక భాగం ఘానాదే. లోట్టే సంస్థ 1964లో తెచ్చిన ఎర్ర పొట్లపు చాక్లెట్‌కు ఆ దేశం పేరే పెట్టింది. ఘానా, ఐవరీ కోస్ట్ దేశాల్లో వానలు గతి తప్పడం, చెట్లు ముసలివైపోవడం, కొమ్మలు ఉబ్బి చెట్టు చచ్చే వైరస్ తెగులు ముదరడం కలిసి, 2024 డిసెంబరులో న్యూయార్క్ మార్కెట్‌లో టన్ను కోకో 12,000 డాలర్లు దాటింది. 2025లో ఆ ధర బాగా దిగివచ్చినా, అంగట్లో పలక ధర మాత్రం దిగలేదు. కొనేవాళ్లు తప్పకుండా చూడవలసింది పొట్లం వెనుక చిన్న అక్షరాల్లో ఉండే సరుకు వర్గం. ఇక్కడి నియమాల ప్రకారం పాలు కలపని రకాల్లో కోకో భాగం కనీసం 35 శాతం ఉంటేనే ముడి సరుకును చాక్లెట్ అనవచ్చు. అంతకంటే తక్కువై కనీసం 15 శాతం ఉన్నదాన్ని జున్-చాక్లెట్ అనే రెండో వర్గంలో చూపాలి. గతంలో మొదటి వర్గంలో ఉన్న కొన్ని సరుకులు మెల్లగా రెండో వర్గంలోకి జారాయి. బొమ్మ, పేరు, రంగు ఏవీ మారకపోయినా, నాలుక మీద కోకో వెన్న కరిగే తీరు పోయి, వనస్పతి తరహా మందపు పూత అంగిలికి అంటుకుంటుంది. పిల్లలు పట్టించుకోరు గానీ, ఒకే రకాన్ని ఏళ్ల తరబడి తిన్నవాళ్లకు ఇది తెలిసిపోతుంది. అందుకే ఇప్పుడు నేను చాక్లెట్ పూసిన బిస్కెట్లు తగ్గించి, తక్కువసార్లైనా నికరమైన పలకనే కొంటున్నాను.

బియ్యం తినే మనవాళ్లకు జపాన్ బియ్యపు చిరుతిళ్ల మీద సహజంగానే మక్కువ కలుగుతుంది. సెంబెయికి మామూలు అన్నపు బియ్యం, అరరే, ఒకాకి రకాలకు జిగురు బియ్యం వాడతారు. ఈ తేడా తెలిస్తే ఒకటి పెళుసుగా విరగడం, మరొకటి గుల్లగా పేలడం ఎందుకో అర్థమవుతుంది. నీగత ప్రాంతపు కమేదా సంస్థ ఈ రంగంలో అగ్రగామి. భారత్‌లో పుట్టి, పరిశోధన కోసం జపాన్ వచ్చిన లేఖ్ రాజ్ జునేజా 2022లో దాని సారథ్యం చేపట్టారు. ఆ సంస్థ మన దేశంలో దావత్ బియ్యం కంపెనీతో కలిసి కరి కరి పేరుతో బియ్యపు చిరుతిండిని కూడా మొదలుపెట్టింది. 2024 వేసవిలో జపాన్ అంగళ్లలో బియ్యం కొరత ఏర్పడి, 2025 వసంతానికి అయిదు కిలోల సంచి 4,000 యెన్లు దాటి ఏడాదిలో రెట్టింపయింది. ఆ వేడి చిరుతిళ్లకూ తగిలింది. ఏ పూట అన్నం వండినా ఆ ధర గుర్తొచ్చే మా ఇంట్లో సెంబెయి పొట్లం విప్పడం కూడా లెక్క చూసుకునే పనైంది.

శాకాహారులకు ఒక హెచ్చరిక ఉంది, దీన్ని నేను తేలిగ్గా చెప్పదలచుకోలేదు. ఇక్కడి తయారీదారులు పాలు, గుడ్డు, గోధుమ, వేరుశనగ వంటి అలర్జీ పదార్థాలను ఎంతో శ్రద్ధగా ముద్రిస్తారు గానీ, మన దేశంలోలా శాకాహార ముద్ర తప్పనిసరి కాదు. గమ్మీలు, మార్ష్‌మాలోలు, మూస్ రకాల్లో జంతువుల ఎముకలు, తోలునుంచి తీసే జెలటిన్ సాధారణం. సోయా సాస్ రుచి వెనుక ఎండు బొనిటో చేప సారం తరచూ ఉంటుంది. ఉప్పు చిప్స్ అనుకున్నవాటిలో కోడి సారం కనిపిస్తుంది. షార్టెనింగ్ (గట్టి కొవ్వు), ఎమల్సిఫయర్ (నూనెనూ నీటినీ కలిపి ఉంచేది) అన్న మాటలు ఎదురైతే అవి మొక్కలనుంచి వచ్చాయో జంతువులనుంచి వచ్చాయో చాలాసార్లు పొట్లం మీద తేలదు. చలికాలంలో మాత్రమే అమ్మే కొన్ని చాక్లెట్లలో, ఉదాహరణకు లోట్టే వారి రమ్మీ, బక్కస్ రకాల్లో, నిజమైన మద్యం ఉంటుంది కనుక పిల్లల చేతికి ఇచ్చే ముందు చూడాలి. కొత్తగా వచ్చే కుటుంబాలకు నేను చెప్పే మొదటి మాట, పదార్థాల జాబితాలో జెలటిన్, గుడ్డు, చేప, కోడి, పంది, మద్యం అన్న అక్షరాలను గుర్తుపట్టడం నేర్చుకోమనే.

సంప్రదాయ మిఠాయిలైన వగాషిలో ఈ చిక్కు చాలావరకు ఉండదు. అజుకి గింజలను ఉడికించి చక్కెరతో దగ్గరపడేదాకా తిప్పిన ముద్ద వాటికి ప్రాణం. పొట్టు తీసేసి మెత్తగా చేస్తే కోషి-అన్, గింజ కనబడేలా ఉంచితే త్సుబు-అన్ అవుతుంది. బొబ్బట్ల పూర్ణం తిని పెరిగిన నాలుకకు ఇది దగ్గరి చుట్టమే అయినా, నెయ్యి, ఏలకులు లేకపోవడం వల్ల మొదట్లో ఏదో వెలితి తోస్తుంది. కొన్నాళ్లు తిన్నాక ఆ వెలితి ఉన్నచోటే గింజ సొంత వాసన పట్టుబడుతుంది. సముద్రపు నాచునుంచి తీసిన కంతెన్‌తో అదే ముద్దను గట్టిపరిచి యోకన్ చేస్తారు. ఇందులో పాలు, గుడ్డు, జెలటిన్ ఏవీ ఉండవు. క్యోటోలో పదహారో శతాబ్దంలో మొదలై, చక్రవర్తి కుటుంబానికి మిఠాయిలు అందించి, 1869లో రాజధానితో పాటు టోక్యోకు తరలివచ్చిన తొరాయా దుకాణం యోకన్ ఈ కోవలో నాకు అత్యుత్తమంగా తోచింది. దాని ధర ఎక్కువే అయినా సన్నని ముక్క ఒక్కటి కోసుకుంటే చాలు, చేదు గ్రీన్ టీతో పాటు తిన్నప్పుడు తృప్తి కలుగుతుంది.

వగాషిని నేను ఏడాది పొడవునా కొనడానికి మరో కారణం ఋతువుల పట్టిక. మార్చిలో బాలికల పండుగకు మూడు రంగుల హిషి మోచి (మోచి అంటే బియ్యపు ముద్ద మిఠాయి), ఏప్రిల్‌లో ఉప్పులో ఊరిన చెర్రీ ఆకు చుట్టిన సకుర మోచి, మే అయిదున ఓక్ ఆకులో కశివ మోచి, జూన్ చివర క్యోటోలో పైన అజుకి గింజలు పరిచిన మినజుకి, పగలు రాత్రి సమానమయ్యే రోజుల్లో అజుకి ముద్ద పూసిన అన్నపు ఉండ అయిన ఒహగి వరుసగా వస్తాయి. సకుర మోచిలోనే రెండు సంప్రదాయాలున్నాయి. టోక్యో సుమిదా నది ఒడ్డున చోమెయిజీ ఆలయం దగ్గర ఎదో యుగంలో (1603–1868) పుట్టినదాన్ని పలుచని గోధుమ పిండి అట్టులో చుడతారు, పడమటి వైపు దొమ్యోజి రకం రవ్వగా దంచిన జిగురు బియ్యంతో చేస్తారు. ఆకు ఉప్పదనం, లోపలి తీపి కలిసినప్పుడు నాకు రెండోదే ఎక్కువ నచ్చుతుంది. ఈ తాజా రకాలు చేసిన రోజే తినాలి, మర్నాటికి బియ్యం గట్టిపడుతుంది. డిపార్ట్‌మెంట్ స్టోర్ల నేలమాళిగల్లో అందంగా అమర్చి అమ్మే పెద్ద పేర్ల మిఠాయిలకంటే, పేటల్లోని చిన్న దుకాణాల్లో వేడివేడిగా పేర్చినవే రుచిలో మేలని నా అనుభవం. మా పేటలో అలాంటి దుకాణం నడిపిన వృద్ధ దంపతులు పని అందుకునే వారసులు లేక దాన్ని మూసేశారు. వాళ్ల ఒహగికి సాటివచ్చేది నాకు ఇప్పటికీ దొరకలేదు.

ఊళ్లనుంచి తెచ్చి పంచే బహుమతి మిఠాయిల గురించి క్లుప్తంగా చెబుతాను. సప్పొరోలో 1976 నుంచి చేస్తున్న షిరొయ్ కొయిబితొ వంటివి నిజంగా బాగుంటాయి, ఒక్కొక్కటి విడి కవరులో ఉండడం వల్ల కార్యాలయంలో పంచడానికి వీలుగా ఉంటాయి. కానీ ఈ వర్గంలో ధరలో పెద్ద భాగం పెట్టెకే పోతోంది. ఒక రైల్వే స్టేషన్‌లో కొన్న పెట్టెలో సగం చోటు అట్టముక్కలే ఉండడం చూశాక నేను వీటిని బాగా తగ్గించాను. ప్లాస్టిక్ తగ్గించే ప్రయత్నాలు అక్కడక్కడా జరుగుతున్నాయి. 2019లో కిట్‌క్యాట్ పెద్ద పొట్లాల బయటి సంచిని కాగితానికి మార్చడం నాకు నచ్చింది.

మార్కెట్ ఎటు వెళ్తోందో అరలే చెబుతాయి. 2024లో జపాన్‌లో పుట్టిన పిల్లలు దాదాపు 6,86,000 మంది మాత్రమే, జనాభాలో 65 ఏళ్లు దాటినవారు పదిమందిలో ముగ్గురికి దగ్గరగా ఉన్నారు. కనుక కొత్త సరుకులు ఎక్కువగా పెద్దల కోసమే వస్తున్నాయి. చూయింగ్ గమ్ అర ఏటేటా కుంచించుకుపోయి, మెయిజీ 2023లో గమ్ వ్యాపారాన్నే వదిలేసింది. ఆ చోటును గట్టిగా నమలవలసిన పుల్లని గమ్మీలు ఆక్రమించాయి. ఆహారం ఆరోగ్యానికి చేసే మేలును తయారీదారే పొట్లం మీద రాసుకోనిచ్చే విధానం 2015లో వచ్చిన తర్వాత ఒత్తిడి తగ్గిస్తుందనీ, కొవ్వు శోషణను అడ్డుకుంటుందనీ రాసుకున్న చాక్లెట్లు పెరిగాయి. వీటిలో కొన్నిటిని నెలల తరబడి తిన్నాను. రుచి పరవాలేదు గానీ, నా నిద్రలోనో మనసులోనో తేడా ఏమీ గమనించలేదు కనుక ఆ ముద్ర కోసం అదనంగా డబ్బు పెట్టమని ఎవరికీ చెప్పను. ఫిబ్రవరి 14న కార్యాలయంలో ఆడవాళ్లు మొహమాటానికి చాక్లెట్లు పంచే ఆచారం కూడా సన్నగిల్లుతోంది. 2018లో గోడివా చాక్లెట్ సంస్థే ఆ ఆచారాన్ని మానుదామని పత్రికలో ప్రకటన ఇచ్చింది, మా కార్యాలయంలోనూ అది ఆగిపోయింది. ఆ ఖర్చు ఇప్పుడు తమకోసం తాము కొనుక్కునే మంచి చాక్లెట్ మీదికి మళ్లింది, ఇది ఆరోగ్యకరమైన మార్పు.

దేశంలో కొనేవాళ్లు తగ్గడంతో పెద్ద సంస్థలన్నీ బయటి దేశాల వైపు చూస్తున్నాయి. మొరినాగా తన నమిలే మిఠాయి హై-చ్యూ కోసం 2015లో అమెరికాలోని నార్త్ కరొలైనాలో కర్మాగారం పెట్టింది, గ్లికో వారి చాక్లెట్ పూసిన బిస్కెట్ పుల్ల పోకీ ఆసియా అంతటా దొరుకుతోంది. విజయవాడకో హైదరాబాద్‌కో తీసుకెళ్లడానికి ఏవి కొనాలని అడిగేవాళ్లకు నా సలహా మాత్రం వేరు. మే నెల ఎండలో చాక్లెట్ పూసినవేవీ రూపం నిలుపుకోవు. మోచి రకాలు దారిలోనే ఆరిపోతాయి. చిన్న కడ్డీలుగా మూసి అమ్మే తొరాయా యోకన్ మామూలు గది వేడిలోనే ఏడాది నిలుస్తుంది, పెద్దవాళ్లకు శాకాహార సందేహం లేకుండా పెట్టవచ్చు. ఇమురాయా విపత్తుల కోసం చేసే యోకన్ అయిదేళ్లు చెడదు, దాని ధర కూడా అందుబాటులోనే ఉంటుంది. పిల్లల కోసం ఒక పెట్టె రమునె బిళ్లలు వేసుకుంటే సామాను బరువు పెద్దగా పెరగదు.